పెన్సిల్‌తో రాసిన మరణకారణం

మీ ఇంట్లో చివరిసారి పోయిన మనిషి ఏ జబ్బుతో పోయారో మీకు తెలుసా? గుండె ఆగిపోయిందట అని మాత్రం చెప్పకండి. ఆ జవాబు నేనూ ఒకసారి చెప్పాను. అది జవాబే కాదని ఇన్నేళ్లు ఒకరి దగ్గర నేర్చుకుని కూడా చెప్పాను.

ఈ ఉదయం బెంగళూరులో, యలహంక పాత ఊళ్లో ఒక చిన్న క్లినిక్‌లో నర్సు నా ఎడమ భుజాన్ని స్పిరిట్ దూదితో తుడిచింది. భుజానికి చల్లదనం తగలడం, ముక్కుకి ఆ ఘాటు ఎక్కడం ఒకేసారి జరిగాయి. డాక్టర్ వనజాక్షి గదిలో ఎప్పుడూ ఆ వాసనే ఉండేది. స్పిరిట్, కరుగుతున్న ఐసు, అప్పుడే చెక్కిన పెన్సిల్ పొట్టు. ఆ గది ఇప్పుడు లేదు. ఆమె కూడా లేరు. సూది గుచ్చుకున్నప్పుడు నేను కళ్లు మూసుకున్నాను. "అంకుల్‌కి భయం" అని నర్సు నవ్వింది. భయం కాదమ్మా అని చెప్పబోయి మానేశాను.

ఆమెను చూడనివాళ్లకు ఆమె ఎవరో చెప్పాలి. ఇన్‌ఫ్లుయెంజా, మనం ఫ్లూ అని తేలిగ్గా పిలిచి కషాయంతో సరిపెట్టుకునే జ్వరం, ఏ ఊళ్లో ఎప్పుడు వస్తోంది, ఎవరిని తీసుకుపోతోంది అని వెతకడం ఆమె వృత్తి. బళేపేటలో గాజుల దుకాణం నడిపే పాత తెలుగువాళ్ల ఇంట్లో పుట్టారు. వైద్యం చదివి, ఆఫ్రికా మురికివాడల్లో, ఆగ్నేయాసియా కోళ్ల సంతల్లో, మంచు కురిసే ద్వీపాల్లో జ్వరాల వెంట తిరిగారు. వచ్చే ఏడాది టీకాలో ఏ రకం వైరస్ ఉండాలో దేశాలన్నీ కూర్చుని తేల్చే బల్ల దగ్గర ఆమెకూ ఒక కుర్చీ ఉండేది. అది వదులుకుని బెంగళూరు తిరిగొచ్చి, యలహంకలో రెండు గదులు అద్దెకు తీసుకుని క్లినిక్ పెట్టారు. ఎందుకొచ్చారని అడిగితే చెప్పిన మాట ఇది: "ఆ బల్ల మీద మన ఊరి కాగితం ఖాళీగా ఉండేదప్పా. ఖాళీగా ఉంటే జబ్బు లేదని కాదు, అడిగేవాళ్లు లేరని."

నేను ఆమెకు మొదట కనబడింది ఒక సభలో, మైకు ముందు. అప్పట్లో నాకు మూఢనమ్మకాలను చీల్చి చెండాడటమే పని. ఆ రోజు నా వేట, జ్వరం వచ్చిన ఇంటి గుమ్మానికి వేపమండ కట్టిన ఒక ముసలావిడ. ఆమెను నేను ఎంత ఎగతాళి చేశానో తలచుకుంటే ఇప్పుడు సిగ్గుగా ఉంటుంది. జనం చప్పట్లు కొట్టారు. సభ ముగిశాక, చివరి వరసలోంచి నూలు చీర కట్టుకున్న ఒక పొట్టి మనిషి నా దగ్గరికి వచ్చి, రెండు గజాల దూరంలోనే ఆగిపోయింది.

"ఆ యమ్మ వేపాకు ఎందుకు కట్టిందో అడిగినావా?"

"అడగడానికేముంది? మూఢనమ్మకం."

"జ్వరం ఉండాది, లోపలికి ఎవురూ రావద్దు అని కట్టింది. నువ్వు జలుబు పెట్టుకుని వచ్చి, ఆ మైకులో దగ్గి, అదే మైకు ఇంకొకరికి ఇచ్చినావు. మీ ఇద్దర్లో హేతువాది ఎవరప్పా?"

ఎదుటివాడి నోరు మూయించడం నా విద్య. నా నోరు మూతపడటం అదే మొదలు. ఆమె వెళ్తూ వెళ్తూ అన్నారు: "యలహంకకి రా. వాదించేది నీకు వస్తాది. అడిగేది నేను నేర్పిస్తా." జలుబు తగ్గాక రమ్మని కూడా అన్నారు. ఆనాటి నుంచి నా పేరు ఆమెకు 'ఉపన్యాసం'. ఏమప్పా ఉపన్యాసం, తిన్నావా? ఏమప్పా ఉపన్యాసం, ఆ ఐసుపెట్టె మూత వేసినావా?

పని చెప్పుకోవడానికి చాలా చిన్నది. జ్వరం, దగ్గుతో క్లినిక్‌కి వచ్చినవాళ్ల ముక్కులోంచి, గొంతులోంచి పుల్లకు చుట్టిన దూదితో నమూనా తీసి, ఐసులో పెట్టి పరీక్షకు పంపాలి. రెండో పని కష్టమైనది. జ్వరంతో మనిషి పోయిన ఇంటికి వెళ్లి, చివరి రోజులు ఎలా గడిచాయో అడిగి రాయాలి. దానికి ఆమె పద్ధతి ఒకటుండేది. జబ్బు పేరు పెన్సిల్‌తోనే రాయాలి. పరీక్ష రుజువు చేస్తేనే దాని మీద పెన్నుతో దిద్దాలి. రుజువు లేకపోతే ఎన్నేళ్లయినా అది పెన్సిల్‌గానే ఉండాలి. "నమ్మకం పెన్సిల్, సాక్ష్యం పెన్ను" అని నేను ఒకసారి గొప్పగా అంటే, "సుమ్నె, ఊరికే రాయప్పా, సభ కాదు ఇది" అని కసిరారు.

యలహంక దాటి విమానాశ్రయం వైపు కడుతున్న అపార్టుమెంట్ల వెనుక రేకుల గుడిసెల్లో, కదిరి ప్రాంతం నుంచి వచ్చిన ఒక మేస్త్రీ ఉండేవాడు. అతని భార్య నాగవేణి ఎనిమిది నెలల గర్భిణి. ఐదు రోజుల జ్వరంతో ఒక నర్సింగ్ హోమ్‌లో చనిపోయింది. లోపలి బిడ్డా దక్కలేదు. మేం వెళ్లేసరికి మేస్త్రీ గోడకు ఆనుకుని కూర్చున్నాడు. డాక్టరమ్మ చెప్పులు విప్పి నేల మీద కూర్చుని, జబ్బు గురించి కాదు, మొదట నాగవేణి గురించి అడిగారు. ఏ ఊరు, ఏం ఇష్టంగా తినేది, బిడ్డకు ఏ పేరు అనుకున్నారు. చాలాసేపటికి అతను ఆస్పత్రి కాగితం తీసి ఇచ్చాడు. దాని మీద ఒక్క ముక్క: గుండె ఆగిపోవడం.

"మా అత్త నన్ను తిడతాండాది మేడమ్. గుండె జబ్బు ఉండే పిల్లతో ఇటుకలు మోయించి చంపినావని. దానికి గుండె జబ్బే లేదు మేడమ్. ఎప్పుడూ లేదు."

"లేదప్పా. ఆ జ్వరం ఫ్లూ. కడుపుతో ఉన్నోళ్లకి అది ఊపిరితిత్తుల్లో దిగితే చాలా కష్టం. నర్సింగ్ హోమ్‌కి పోకముందే మా క్లినిక్‌లో తీసిన శాంపిల్ రిపోర్టు వచ్చింది. రేపు మీ అత్తకు నేనే ఫోన్లో చెప్తా."

అతను కిందికి చూస్తూ అడిగాడు: "నాకే ముందొచ్చింది జ్వరం. నేనే తెచ్చినానా మేడమ్?"

నేను ఆమె వైపు చూశాను. కాదు అంటారనుకున్నాను.

"తెచ్చి ఉండొచ్చప్పా" అన్నారామె. "నీకు ఇంకెవరో తెచ్చినారు, వాళ్లకు ఇంకెవరో. తెలియక తెచ్చినోడిది తప్పు కాదు. తెలిసి దాచిపెట్టేటోడిదే తప్పు. ముందుగా నీకు చెప్పాల్సింది మా బోటోళ్లం. చెప్పలేదు."

మేస్త్రీ ఏడ్చాడు. బయటికి వచ్చాక నాకు కోపం ఆగలేదు. ఒక్క అబద్ధం చెబితే ఏం పోయేది అన్నాను. ఆమె నడుస్తూనే జవాబిచ్చారు: "వాడు అడిగినాడు. అడిగినోడికి అబద్ధం చెప్తే, దేవుడి పేరు చెప్పి నోరు మూయించేవాళ్లకీ మనకీ ఏం తేడా?"

ఆ నర్సింగ్ హోమ్ డాక్టరు దగ్గరికీ వెళ్లాం. ఆయన ఫోన్ చూస్తూ, "బంధువులు తొందరపెడతారు మేడమ్, ఏదో ఒకటి రాయాలి కదా" అన్నాడు.

"గుండె ఆగకుండా సచ్చిపోయినోళ్లు ఎవరన్నా ఉండారా డాక్టర్?" అని ఆమె నెమ్మదిగా అడిగారు. "కింద ఇంకో రెండు గీతలు ఉండాయి. ఆగింది దేనివల్ల, అది మళ్లీ దేనివల్ల అని. వాటి మీద మీ పెన్ను పోదా?"

ఆయన కాగితం మార్చలేదు. అలాంటి కాగితాలు ఆమె జీవితమంతా చూశారు. ఎన్ని మార్పించగలిగారో నాకు తెలుసు. ఒక చేతి వేళ్లు చాలు. గదుల అద్దెకు నిధులు ఆగిపోయి, ఐసుపెట్టెలు ఎవరికో ఇచ్చేసి, బళేపేటలో తమ్ముడి దుకాణం పైగదికి మారిన రోజున ఆమె ముఖంలో ఓటమి కనబడింది. అంతకు ముందూ తర్వాతా నేను దాన్ని ఆ ముఖంలో చూడలేదు. దేశదేశాలు తిరిగిన మనిషి, కింద గాజులు గలగలమంటుంటే, కిటికీ పక్కన పాత ఫారాలు తిరగేస్తూ కూర్చునేవారు.

నేను మాత్రం ఎదిగాను. ఆమె నేర్పిన 'అడగడం' మీదే నా వ్యాసాలు నిలబడ్డాయి. బాబాల్ని అడిగాను, జ్యోతిష్కుల్ని అడిగాను. అడగనిది నా సొంత నమ్మకాన్ని ఒక్కదాన్నే. ఏటా వానాకాలానికి ముందు ఆమె ఫోన్ చేసేవారు: "సూది ఏసుకున్నావా?" ఫ్లూ టీకా అంతా మందుల కంపెనీల వ్యాపారమని వాదించేవాణ్ణి. "నాకు ఎందుకు, నేను గట్టిగానే ఉన్నాను" అనేవాణ్ణి. "నీ కోసం కాదప్పా. నేను ఏటా ఏయించుకుంటా ఉండా. ముసలి ఒంట్లో అది అంత బాగా పని చేయదు. మా దగ్గరికి వచ్చిపోయేవాళ్లు ఏయించుకుంటేనే మాకు కాపు." సరే మేడమ్ అని ఫోన్ పెట్టేసేవాణ్ణి. ఫ్లూ అంటే మామూలు జలుబే అన్నది నా మూఢనమ్మకం. దాన్ని వేపమండలా నా గుమ్మానికి కట్టుకుని, నాకే కనబడకుండా చేసుకున్నాను.

పోయిన వానాకాలంలో అత్తిబెలెలో ఫ్యాక్టరీ కార్మికుల సభలో మాట్లాడి, తిరిగివస్తూ బళేపేటలో దిగాను. ఒళ్లు నొప్పులుగా ఉంది. మెట్లెక్కుతుంటే పొడిదగ్గు వచ్చింది. ఆమె తలుపు సగం తీసి, అలాగే నిలబడ్డారు.

"ఏమప్పా ఉపన్యాసం, జ్వరమా?"

"కాదు మేడమ్, దుమ్ము. అత్తిబెలె రోడ్డంతా లారీల దుమ్ము."

"నిజంగా?"

"నిజంగా."

"నువ్వు చెప్తే సరేలే" అని తలుపు పూర్తిగా తీశారు. ఇన్నేళ్లలో ఆమె సాక్ష్యం అడగకుండా నమ్మిన మాట బహుశా అదొక్కటే. రెండు గంటలు కూర్చున్నాను. కాఫీ తాగాను. వేపాకు ముసలావిడ కథ చెప్పుకుని ఇద్దరం నవ్వుకున్నాం.

మర్నాడు నాకు జ్వరం ముంచుకొచ్చింది. తగ్గి లేచిన రోజునే ఆమె తమ్ముడు శ్రీనివాసులు ఫోన్ చేశాడు, అక్కకు ఊపిరాడటం లేదని. ఆస్పత్రిలో ఆమె ముఖానికి ఆక్సిజన్ మాస్కు ఉంది. డ్యూటీ డాక్టరు కుర్రతనం వదలని అమ్మాయి. నన్ను పక్కకు పిలిచి, "ఫ్లూకి శాంపిల్ పంపమంటారా? వయసులో పెద్దావిడ కదా, మామూలు న్యుమోనియా కూడా కావచ్చు" అంది. ఎన్ని వందల ముక్కుల్లో ఆ పుల్ల పెట్టానో నాకే లెక్క లేదు. నేను ఏమన్నానో వినండి: "ఎందుకులెండి, పెద్దావిడను ఇబ్బంది పెట్టడం."

ఆ మాట ఆమె చెవిన పడింది. మంచం మీద నుంచి చెయ్యెత్తి, వేలితో తన ముక్కు చూపించారు. రెండుసార్లు. దాని అర్థం ఆ గదిలో నాకొక్కడికే తెలుసు. నేను మాస్కు ఒత్తుకుంటోందని అనుకున్నట్టు నటించి, దాని పట్టీ వదులు చేశాను. ఆమె నన్ను చూస్తూనే ఉన్నారు. తర్వాత చెయ్యి దించేశారు.

పరీక్ష చేసి ఉంటే వేరే మందు మొదలయ్యేదేమో. బతికేవారేమో. బతికేవారు కాదేమో. దుకాణానికి రోజూ వచ్చే ఎవరి నుంచైనా ఆ జ్వరం వచ్చి ఉండొచ్చు. నాకు తెలియదు. తెలుసుకోవడానికి ఉన్న దారి ఒక్కటే, దాన్ని నేనే మూశాను. అవతల ఎవడో సాక్ష్యానికి భయపడితే నేను పేజీలు పేజీలు రాసేవాణ్ణి.

మూడో రోజు ఆమె పోయారు. ఆస్పత్రి కాగితం శ్రీనివాసులు నా చేతికే ఇచ్చాడు, నేను చదువుకున్నవాణ్ణని. పై గీత మీద: గుండె ఆగిపోవడం. కింది రెండు గీతలు ఖాళీ. "అక్కకి ఏమైందప్పా? నీకు తెలుస్తాది కదా" అని అడిగాడు. "వయసు" అన్నాను. కాగితం మడిచి అతని జేబులో పెట్టాను.

ఏడాదిపాటు ఆ మడత నన్ను కోసింది. పోయిన వారం బళేపేట వెళ్లి అంతా చెప్పాను. దగ్గు, దుమ్ము, ముక్కు చూపించిన వేలు. శ్రీనివాసులు గాజుల పెట్టె అద్దం తుడుస్తూ విన్నాడు. తుడిచిన చోటే మళ్లీ మళ్లీ తుడిచాడు. తర్వాత లోపలికి వెళ్లి ఆ కాగితం తెచ్చి నా ముందు పెట్టాడు. జేబులోంచి పెన్సిల్ తీసి, మధ్య గీత మీద రాశాను: న్యుమోనియా. కింద గీత మీద: ఇన్‌ఫ్లుయెంజా, అనుమానం. పక్కన అంచులో నా పేరు. దాన్ని పెన్నుతో దిద్దే రోజు ఎప్పటికీ రాదు.

నన్ను క్షమించు అన్నాను. అతను తలెత్తలేదు. "సూది ఏయించుకున్నావా?" అన్నాడు, అచ్చం ఆమె గొంతుతో. లేదన్నాను. "పో. పోయి ఏయించుకుని రా. తర్వాత మాట్లాడదాం."

అందుకే ఈ ఉదయం యలహంక వచ్చాను. భుజం నొప్పిగా ఉంది. బళేపేట ఇంకా వెళ్లలేదు. అతను ఏం మాట్లాడతాడో తెలియదు, అసలు మాట్లాడతాడో లేదో కూడా తెలియదు. ఆమె నాకు ఇచ్చిపోయినది ఓదార్పు కాదు, ఒక ప్రశ్న. దాన్ని నా ఒక్కడి దగ్గర ఉంచుకునే హక్కు నాకు లేదు.

కనుక మీరు లేవండి. బీరువాలో బట్టల కింద మీరు దాచిన ఆ ఆస్పత్రి కాగితం తీయండి. కింది గీతలు చదవండి. ఖాళీగా ఉంటే, దాన్ని రాసిన డాక్టరు దగ్గరికి ఈ వారమే వెళ్లి, గుండె ఎందుకు ఆగిందో అడగండి. జవాబు మీ పేరే అయినా సరే, అడగండి.