సణగని బాలింత

దొమితీలా అర్రెగీన్ నోటికి జడవనివాళ్ళు అమెరికాలోని యాకిమా లోయలో తక్కువ. ఆ నోటి పుణ్యమా అని ఆపిల్ ప్యాకింగ్ షెడ్డులో ఆమెను ఒకసారి పనిలోంచి తీసేశారు. ఆ నోరు లేకపోతే వరసలో ఆడవాళ్ళు కునుకుతున్నారని మళ్ళీ వాళ్ళే పిలిచారు. మెక్సికోలోని మిచోఆకాన్ కొండల్లోంచి వచ్చేటప్పుడు ఆమె వెంట తెచ్చుకున్నవి ఒక మొగుడు, ఒక ఉన్ని దుప్పటి, నాయనమ్మ దగ్గర నేర్చిన బాలింతల పని. మొగుడు అలాస్కాలో చేపల పడవల మీద పని దొరికిందని వెళ్ళి అటే పోయాడు. దుప్పటి చిమటల పాలైంది. బాలింతల పని మాత్రం ఆమెను వదల్లేదు, ఆమె దాన్ని వదల్లేదు.

బిడ్డను కన్నాక తల్లి నలభై రోజులు గడప దాటకూడదు. రోజులని కూడా అనరు, ఉత్తి ‘నలభై’ అంటారు. చన్నీళ్ళు తగలకూడదు, గాలి సోకకూడదు, మిరపకాయ ముట్టకూడదు, తల రుద్దుకోకూడదు. కోడిపులుసు, మొక్కజొన్న జావ తాగాలి. నడుముకు గుడ్డ బిగించి కట్టుకోవాలి. అన్నింటికంటే గట్టి నియమం ఇంకోటుంది. బాలింత ఏడవకూడదు. ఏడిస్తే తల్లి దిగులు పాలలోకి దిగి బిడ్డకు చేరుతుందని భయం. చుట్టుపక్కల ఎవరు ప్రసవించినా నడికట్టు కట్టడానికి దొమితీలాకే కబురు వచ్చేది. షెడ్డు దిగి, చేతులు కడుక్కుని, పులుసు గిన్నె చంకన పెట్టుకుని వెళ్ళేది.

కొన్నేళ్ళ కిందట ఊళ్ళో క్లినిక్ వాళ్ళు ఇలాంటి ఆడవాళ్ళను పోగేసి, మనసుకు వచ్చే జబ్బుల గురించి తర్ఫీదు ఇచ్చారు. దిగులు ముదరక ముందే ఎలా పసిగట్టాలో, ఎలా అడగాలో, ఎవరి దగ్గరికి పంపాలో నేర్పి, కాగితాలు చేతికిచ్చి ఇంటింటికీ వెళ్ళమన్నారు. దొమితీలా వెళ్ళింది. తలుపులు జానెడు తెరుచుకునేవి. మా ఇంట్లో పిచ్చివాళ్ళెవరూ లేరమ్మా అని మహా మర్యాదగా చెప్పి మళ్ళీ మూసుకునేవి. నెల తిరక్కుండానే ఆమె ఆ కాగితాలను సంచి అడుగున పడేసి, పాత పులుసు గిన్నెతోనే బయల్దేరింది. పులుసు గిన్నెను చూసి తలుపు వేసే ఇల్లు ఆ లోయలో లేదు. క్లినిక్‌లో తర్ఫీదు ఇచ్చిన లూర్దెస్ ఆ సంగతి విని నవ్వి, అలాగే కానివ్వమంది.

హెర్లిందా కోడలు యాదీరా ప్రసవించినప్పుడు కూడా దొమితీలా అలాగే వెళ్ళింది. నిజానికి ఆ ఇంటికి వెళ్ళడానికి గిన్నె సాకు కూడా అక్కర్లేదు. హెర్లిందా, ఆమె ఒకే కొండ ఊరి వాళ్ళు. హెర్లిందా ఒక్కగానొక్క కొడుకు ఎలీసెయోకు జ్ఞానస్నానం నాడు జ్ఞానతల్లిగా నిలబడి చేతుల్లో పట్టుకున్నది దొమితీలా. ఆ రోజు నుంచి ఇద్దరూ ఒకరికొకరు ‘కొమాద్రె’లు. ఆ బంధం తోడబుట్టినదానికంటే ఒక మెట్టు పైన ఉంటుంది. చిన్నప్పుడు ఒకే వాగులో బురద పూసుకుని తిరిగినవాళ్ళయినా సరే, కొమాద్రెలయ్యాక ఒకరినొకరు మీరు అనుకోవాలి. పోట్లాడుకోకూడదు. భూమ్మీద మిగతా జనమంతా పోట్లాటకు ఉన్నారు, దొమితీలా వాళ్ళతో ఆ కొరత తీర్చుకునేది.

కోడలి గురించి చర్చి మెట్ల మీద హెర్లిందా ఒకటే గొప్పలు చెప్పింది. ఈ కాలం పిల్లల్లా కాదట. తల రుద్దుకుంటానని గొడవ లేదట, ఫోను అడగదట, పెట్టింది తింటుందట, పడుకోమన్నచోట పడుకుంటుందట. నలభై పట్టడమంటే మా యాదీరాను చూసి నేర్చుకోవాలని అందరితో అంది. విన్నవాళ్ళంతా తమ కోడళ్ళను తలుచుకుని నిట్టూర్చారు.

దొమితీలాకు మాత్రం ఆ పొగడ్త మింగుడు పడలేదు. ఆమె చేతుల మీదుగా ఎందరో బాలింతలు లేచి తిరిగారు. అందరూ సణిగినవాళ్ళే. తల దురద అని ఒకతి, మిరపకాయ లేని కూడు గొడ్లకు పెట్టమని ఒకతి, అత్తగారి గురక గురించి ఇంకొకతి. కట్టు బిగిస్తుంటే తిట్టనివాళ్ళు లేరు. సణగని బాలింతను ఆమె ఇంతవరకు చూడలేదు.

చెర్రీ కోతలు జోరుగా సాగుతున్న రోజులవి, యాదీరా నలభై చివరికొచ్చింది. ఆ రోజు ఎలీసెయో తెల్లవారకముందే తోటకు వెళ్ళిపోయాడు. మళ్ళీ కట్టు బిగించడానికి దొమితీలా వెళ్ళేసరికి కిటికీలు బిగించిన గదిలో యాదీరా గోడవైపు తిరిగి పడుకుని ఉంది. పక్కన ఉయ్యాల బుట్టలో పిల్ల గుక్కపట్టి ఏడుస్తోంది. యాదీరా లేవమంటే లేచింది, చేతులెత్తమంటే ఎత్తింది. కట్టు ఎంత బిగించినా ఊపిరి కూడా గట్టిగా వదల్లేదు. దొమితీలా ఏప్రాన్ జేబులో దాచి తెచ్చిన ఊరమిరపకాయ తీసి, అత్తకు తెలియకుండా కొరుక్కోమని చేతిలో పెట్టింది. పెళ్ళికి ముందు ఆ పిల్ల మిరపకాయలు జామపళ్ళలా నమిలేదని లోయంతటికీ తెలుసు. యాదీరా దాన్ని మంచం మీద పెట్టి, మీ ఇష్టం దోన్యా అంది, పెద్దావిడను మర్యాదగా పిలిచే పిలుపుతో. ఆ జవాబుకు అర్థం లేదు.

పిల్లను భుజాన వేసుకుని, మంచం మీదే కూర్చుని, ఆమె మెల్లిగా అడగడం మొదలుపెట్టింది. పిల్ల ఏడిస్తే ఏమనిపిస్తుందని అడిగితే, ఏమీ అనిపించదని, పక్కింట్లో ఎవరో ఏడుస్తున్నట్టుంటుందని చెప్పింది. నిద్ర పడుతోందా అంటే లేదంది. పులుసు తాగుతున్నావా అంటే, సింకులో పోస్తున్నానని దాచకుండా చెప్పింది. ఏడుపొస్తోందా అని అడిగినప్పుడు మాత్రం తలుపువైపు చూసింది.

“ఏడిస్తే పాలు పాడవుతాయిగా దోన్యా. అందుకే ఆపేశాను. ఇప్పుడు రమ్మన్నా రావట్లేదు” అంది. కాసేపాగి తనే మళ్ళీ అంది. “నలభై అయ్యేదాకా గడప దాటకూడదుగా. అయ్యాక ఒకసారి కాలువ దాకా వెళ్ళాలి.”

చెర్రీ తోటల వెనక పారే కాలువకు సిమెంటు గట్లు. నీళ్ళు ఉరవడిగా పోతాయి. షికారుకు అటు వెళ్ళేవాళ్ళు ఎవరూ లేరు. తర్ఫీదులో లూర్దెస్ మరీ మరీ చెప్పింది, చుట్టూ తిప్పకుండా అడగమని. అడిగినంత మాత్రాన లేని ఆలోచన పుట్టదు, అడగకపోతే ఉన్నది బయటికి రాదు. అంత నోరున్న మనిషికి ఆ ఒక్క మాట పెగలడానికి చాలాసేపు పట్టింది.

“చచ్చిపోదామనుకుంటున్నావా, బిడ్డా?”

“ఊఁ” అంది యాదీరా, టీ తాగుతావా అంటే అన్నంత మామూలుగా. “అత్తయ్యకు పిల్లల్ని పెంచడం బాగా వచ్చు. నాకు రాదు. నలభై నిండితే పిల్ల గట్టిపడుతుందట కదా.”

నలభై నిండడానికి వారం కూడా లేదు. నిండిన రోజు విందుకని హెర్లిందా అప్పటికే మేకపిల్లను మాట్లాడి పెట్టింది. దొమితీలా ఒక చేత్తో యాదీరా మణికట్టు పట్టుకుని, ఇంకో చేత్తో క్లినిక్‌కు ఫోను చేసింది. లూర్దెస్ అంతా విని, ఆ అమ్మాయిని ఒక్క క్షణం ఒంటరిగా వదలొద్దని, వెంటనే తీసుకురమ్మని, ఇంట్లోవాళ్ళు కదలనివ్వకపోతే తనే మనిషిని పంపిస్తానని చెప్పింది. మేమే వస్తున్నామని దొమితీలా ఫోను పెట్టేసింది.

అప్పుడే ఎలీసెయో వచ్చాడు. ఎండ ముదిరితే చెర్రీ కోత ఆపేస్తారు. వేళ్ళన్నీ ఊదారంగు తిరిగి, టోపీ చేతిలో పట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు. దొమితీలా విషయం చెప్పగానే మొహం పాలిపోయి, అమ్మ ఏమంటుందో అన్నాడు. అమ్మ సంగతి నేను చూసుకుంటాను, నువ్వు నీ పెళ్ళాం చెయ్యి పట్టుకుని ఇక్కడే కూర్చో, ఆ చెయ్యి వదిలావంటే నీ తలమీద పోయించిన జ్ఞానస్నానం నీళ్ళు వెనక్కి తీసుకుంటాను అని ఆమె కసిరింది. వాడు కూర్చున్నాడు. భార్య చేతిని రెండు చేతుల్లోకి తీసుకుని ఏడవడం మొదలుపెట్టాడు.

వంటింట్లో జావ కలుపుతున్న హెర్లిందాకు దొమితీలా వెళ్ళి సంగతి చెప్పింది. గాలి సోకితే గర్భసంచిలో చలి చేరి జన్మంతా పీడిస్తుందని హెర్లిందా ఒప్పుకోలేదు. పిచ్చి డాక్టరు దగ్గరికి వెళ్తే పేరు రాసుకుని పిల్లను లాక్కుపోతారని, పై ఊళ్ళో ఎవరికో అలాగే అయిందని చెప్పింది. రేపు చర్చిలో మొహం ఎలా చూపించాలంది. అసలు జబ్బెక్కడుంది, ఇంత బుద్ధిగా నలభై పడుతున్న పిల్లకు అంది. దొమితీలా ఒక్కోదానికి జవాబు చెప్పింది. ఒళ్ళంతా కప్పి తీసుకెళ్దామంది. పిల్లను లాక్కోవడానికి కాదు, తల్లిని నిలబెట్టడానికే వాళ్ళున్నారని, తను వాళ్ళలో ఒకతిననీ చెప్పింది. మొహం సంగతైతే, కాలువలోంచి కోడలిని తీసిననాడు ఆ మొహం ఇంకెక్కడ పెట్టుకుంటారని అడిగింది. హెర్లిందా చేతిలో గరిటె ఆగిపోయింది. అయినా తల అడ్డంగానే ఊపింది.

“ఇది నా ఇల్లు, కొమాద్రె.”

“మీ ఇల్లే. నన్ను గెంటేయండి, మళ్ళీ పిలవొద్దు, దారిలో కనబడితే మొహం తిప్పుకోండి. అన్నీ పడతాను. ఆ పిల్లను మాత్రం వదిలిపెట్టి పోను.”

ఇన్నేళ్ళలో ఆ ఇద్దరి మధ్య అలాంటి మాట రాలేదు. అన్నాక దొమితీలా ఒక కుర్చీ లాక్కుని, లోపలి గది కనబడేలా గుమ్మానికి అడ్డంగా వేసుకుని కూర్చుంది. స్నేహం పోతే పోయింది, మనిషి ఉండాలి అనుకుంది. బాధ లేకపోలేదు. ఉన్న ఒక్క కొమాద్రె ఆమే.

హెర్లిందా పొయ్యి కట్టేసింది. అటు తిరిగే మాట్లాడింది.

“నేను మాత్రం ఏడవలేదా? వాడు పుట్టినప్పుడు దిండు నోట్లో కుక్కుకుని ఏడ్చాను. మా అత్త ఊరంతా చెప్పుకుంది, నా కోడలంత బుద్ధిమంతురాలు లేదని. నన్నెవరూ ఎక్కడికీ తీసుకెళ్ళలేదు. దానంతటదే పోయింది.”

ఎలీసెయో నడక వచ్చేదాకా ఎక్కువగా దొమితీలా ఒడిలోనే పెరిగాడు. ఒంట్లో నలతగా ఉందని హెర్లిందా వాణ్ణి అప్పగించేది. ఈనాటికీ కొడుకు గదిలోకి వస్తే ఆమె ఏదో పని కల్పించుకుని లేస్తుంది. అన్నం పెడుతుంది, బట్టలు ఉతుకుతుంది, తల మీద చెయ్యి వేయదు. ఆవిడ తీరే అంత అని అందరూ అనుకున్నారు.

“పోయిందా, కొమాద్రె?”

గదిలో పిల్ల మళ్ళీ ఏడుస్తోంది. హెర్లిందా ఏప్రాన్ విప్పి కుర్చీ వీపున వేసి, దొమితీలా మోకాళ్ళను పక్కకు నెట్టి లోపలికి వెళ్ళింది. అలమరలోంచి తన నల్ల శాలువా తీసింది. కోడలి చెవుల్లో దూది పెట్టింది, కాళ్ళకు ఉన్ని మేజోళ్ళు తొడిగింది, శాలువాను తల మీంచి నడుము దాకా చుట్టింది. బయట ఎండ మాడ్చేస్తోంది. యాదీరా ముక్కు తప్ప ఏమీ కనబడలేదు. పిల్లను తనే ఎత్తుకుని, బండి తీయరా అని కొడుకుతో అంది.

క్లినిక్‌లో ఏసీ చూసి మళ్ళీ గొడవ. బాలింత ఉన్న గదిలో ఆ చలిమర ఏమిటని హెర్లిందా గుమ్మంలోనే నిలబడిపోయింది. లూర్దెస్ మారు మాట్లాడకుండా లేచి దాన్ని కట్టేసింది, కిటికీ కూడా మూసింది. అందరికీ చెమటలు కారుతుండగా మెల్లిగా మాటల్లోకి దింపింది. యాదీరాతో ఒంటరిగా మాట్లాడనా, ఎవరైనా ఉండాలా అని అడిగితే, యాదీరా అత్తవైపు వేలు చూపించింది. ఎందుకో ఎవరికీ అర్థం కాలేదు, హెర్లిందాకు అసలే కాలేదు. దొమితీలా, ఎలీసెయో బయటికి వెళ్ళబోతే యాదీరా వాళ్ళనూ ఉండమంది.

నిద్ర గురించి, తిండి గురించి లూర్దెస్ అడిగింది. ఒక్కో మాటలో జవాబులు వచ్చాయి. పిల్లను చూస్తే ఏమనిపిస్తుందని అడిగింది. తర్వాత కాలువ గురించి అడిగింది. యాదీరా నోరు తెరిచి, శాలువా అంచుల మధ్య నుంచి అత్త మొహం చూసి, మూసేసింది. ఇంట్లో దొమితీలాతో అంత తేలిగ్గా వచ్చిన మాట అత్త ముందు రావడం లేదు. ఇప్పుడు దాచేస్తే ఇంక ఎప్పటికీ చెప్పదని దొమితీలాకు తెలుసు. అయినా ఇక్కడ ఆమె చేసేదేమీ మిగల్లేదు.

హెర్లిందా పిల్లను ఎలీసెయో చేతికిచ్చి, కుర్చీ దగ్గరికి జరుపుకుంది. కోడలి తల మీది శాలువాను వెనక్కి తీసింది. చెవిలో దూది కూడా తీసి పక్కన పెట్టింది.

“ఏడుపొస్తే ఏడువు. పాలు పోతే పోనీ, డబ్బా పాలు పడదాం” అంది. ఆ తర్వాత మాట రెండోసారి అంటే గాని వినబడలేదు. “చెప్పు బిడ్డా. నేను అప్పుడు చెప్పలేదు.”

యాదీరా చెప్పడం మొదలుపెట్టింది.