వంకర చిటికెన వేలు

ఎడిటింగు గదిలో అందరూ ఆమెను కత్తెరక్క అనేవారు. ఇరవై రెండేళ్లుగా డాక్యుమెంటరీలు కత్తిరిస్తోంది. కూలిన గనులు, మూసేసిన బళ్లు, విషం కలిసిన నీళ్లు. పోస్టరు మీద "సమాజాన్ని కదిలించే చిత్రం" అని వేస్తే ఆమెకు ఒళ్లు మండేది. కదిలిందేమిటో చూపిస్తే ఆ షాటూ పెడతాననేది.

రంగుల ఫ్యాక్టరీ మీద తీసిన చిత్రంలో ఒక కార్మికుడు నోరు విప్పాడు. ముఖం కనపడకూడదన్నది అతని ఒకే ఒక్క షరతు. కత్తెరక్క ముఖాన్ని మసక చేసింది, గొంతు మార్చింది. కానీ మసకను ఎంతసేపని చూస్తారు జనం? ముఖం లేనిచోట చేతులు చూపించడం ఈ వృత్తిలో పాత అలవాటు. మోకాలి మీద ఆనించిన అతని చేతిని నాలుగు సెకన్లపాటు పెట్టింది.

చిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. వారం తిరక్కుండా అతని భార్య మెట్లెక్కి వచ్చింది.

"ముఖం దాచారు, బాగానే ఉంది. ఆ వంకర చిటికెన వేలు ఫ్యాక్టరీలో ఎవరికి తెలీదమ్మా? గేటు దగ్గరే ఆపేశారు."

కత్తెరక్క ఆ షాటు మళ్లీ వేసింది. యాభైసార్లు చూసిందే. వెలుగు చూసింది, లయ చూసింది. వేలు చూడలేదు.

"పక్క ఊళ్లో పని దొరికింది. వాళ్లకింకా తెలీదు. ఆదివారం టీవీలో వేస్తారటగా?" అంది భార్య.

కత్తెరక్క దర్శకుడికి ఫోను చేసి సంగతంతా చెప్పి, ఆ షాటు తీసేస్తానంది.

"ఆ చెయ్యి తీసేస్తే సినిమాకి ప్రాణమేముంటుందక్కా?"

"ఇక్కడొకడి నోటికాడ కూడు పోతోందిరా."

"అక్కడివాళ్లు టీవీ చూస్తారని ఏముంది?"

"అందరూ చూడాలనే కదా తీశావు. ఇప్పుడు చూడరంటావేం?"

"తీసెయ్. వచ్చే సినిమాకి మాత్రం వేరేవాళ్లని చూసుకుంటా."

"చూసుకో."

నాలుగు సెకన్లు కోసేసి నల్ల తెర పెట్టింది. భార్య పక్క కుర్చీలో కూర్చుని రెండుసార్లు వేయించుకుని చూసింది. తలూపింది.

సాగనంపడానికి కత్తెరక్క కిందికి దిగింది. వీధి మలుపులో గోడమీద సినిమా పోస్టరు. తలుపంత చెయ్యి, పక్కకి తిరిగిన చిటికెన వేలు. నెల కిందట ఆ బొమ్మ ఏరి ఇచ్చింది తనే.

"ఇవి ఎన్ని అతికించారమ్మా?"

కత్తెరక్కకు తెలీదు. భార్య అప్పటికే ఒక మూల గోటితో గీకుతోంది. జిగురు గట్టిగా పట్టింది.