కండ్లు మూయించి ఊళ్ళు చూపించే సుంకప్ప మామ

మా సుంకప్ప మామ ఎవరికి ఏది చూపించాలన్నా ముందు కళ్ళు మూసుకోమంటాడు. కొండ చూపించాలన్నా అంతే, కోట చూపించాలన్నా అంతే, సంతలో కొన్న కొత్త చెప్పులు చూపించాలన్నా అంతే. ఒకసారి మా వంటింట్లోకి పాము వచ్చింది. "అమ్మీ, కండ్లు మూసుకో, నీకొకటి చూపిస్తా" అన్నాడు. నేను మూసుకోలేదు. అప్పటి నుంచి ఆయన మూసుకోమన్నప్పుడల్లా ఒక కన్ను సగం తెరిచి ఉంచడం నాకు అలవాటైపోయింది.

మామ అంటే మా అమ్మకు అన్న. ముప్పై ఏళ్ళు కర్నూలు కడప కాలువ మీద లస్కరుగా పనిచేశాడు. లాకు తలుపులు ఎత్తడం, దించడం, దొరలు వస్తే బంగళా తాళం తీసిపెట్టడం ఆయన ఉద్యోగం. పని దిగిపోయాక ఊరికే కూర్చోలేక, బస్సు మాట్లాడి జనాన్ని పోగేసి, దొరల బంగళాలూ గుహల్లోని దేవుళ్ళనూ ఒక్కరోజులో చూపించి తెచ్చే పని పెట్టుకున్నాడు. కర్నూలు రాజధాని అయి, డేరాల్లో ఆఫీసులు వెలిశాక వచ్చేవాళ్ళకు కొదవ లేకపోయింది. నా చదువు ఎనిమిదో తరగతితో ఆగిపోయి ఇంట్లోనే ఉన్నాను గనక, ఆడవాళ్ళకు తోడుగానూ, సమాధుల మీది ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుని చదవడానికీ నన్ను వెంట తీసుకుపోయేవాడు.

ఇంట్లో ఉరుకుందమ్మ అత్త దగ్గర కూడా ఆయనది అదే పాట.

"కండ్లు మూసుకోని తిను ఉరుకుందా. పప్పులో ఉప్పు యాడ తగ్గిందో తెలుస్తాది."

"నీవు కండ్లు మూసుకోనే నన్ను పెండ్లి చేసుకుంటివి. నేను తెరుచుకోని చేసుకుంటి. మన ఇద్దరిలో ఎవురికి బుద్ధి లేదో అప్పుడే తెలిసిపాయ" అనేది అత్త.

ఒక యాత్రలో ఫోటో తీసే ఆయన వచ్చాడు. "అందరూ కండ్లు మూసుకోండప్పా, మొగం కళగా వస్తాది" అన్నాడు మామ. ఆ ఫోటో ఇప్పటికీ మా గోడకు ఉంది. ముప్పై రెండు మంది వరసగా నిలబడి ఉన్నారు. ఒక్కరికీ కళ్ళు లేవు. కొత్తగా వచ్చిన చుట్టాలు దాని ముందు ఆగి, గొంతు తగ్గించి, "ఏ ఊరమ్మా పాపం?" అని అడుగుతారు.

బస్సు డ్రైవరు దాసన్న మాత్రం మొదటి రోజే షరతు పెట్టాడు. "సుంకప్పా, ఎవురికన్నా చెప్పుకో. స్టీరింగు కాడ ఉండంగ నాకు మటుకు చెప్పొద్దు."

నేను చెప్పబోయేది రాజధాని వచ్చిన రెండో కార్తీకంలో సంగతి. ఆ రోజు బస్సులో పెద్ద ఈరన్న అని కోడుమూరు వైపు రైతు ఒకాయన ఎక్కాడు. ఆయన ఎత్తుకు బస్సు తలుపు చాలదు, మీసానికి ఆయన మొహం చాలదు. ఆయన వెనకాలే వియ్యంకుడు మారెన్న ఎక్కాడు. మనిషి సన్నం, మాట ఇంకా సన్నం, సూదిలాగా దిగేది. ఈరన్న కూతురు సుబ్బక్క మారెన్నకు కోడలు. పెళ్ళైన నాలుగేళ్ళకు ఆ పిల్ల నీళ్ళు పోసుకుంది. కూతురి కడుపు పండితే యాగంటి గుహలో తన చేత్తో దీపం పెడతానని ఈరన్న ఎప్పుడో మొక్కుకున్నాడు. ఆ మొక్కు తీరితేగాని కోడల్ని కాన్పుకు పుట్టింటికి పంపనని మారెన్న భీష్మించాడు. ఈరన్న ఇప్పటికి రెండుసార్లు గుహ దాకా పోయి వెనక్కి వచ్చాడట. ఒకసారి చెప్పు తెగిందట, ఇంకోసారి కడుపులో తిప్పిందట. ఇంకో అయిదు రోజులైతే సుబ్బక్కకు ఎనిమిదో నెల. ఎనిమిదో నెలలో కడుపుతో ఉన్న పిల్లను ఎవరూ బండెక్కించరు. ఆ పిల్ల పుట్టింటికి రావడమా మానడమా అనేది ఈ యాత్రతో తేలిపోవాలి.

"ఈసారి ఏం తెగుతాదో బావా" అన్నాడు మారెన్న.

"నీ నాలిక తెగుతాది బావా. దీపం పెట్టేటోడిని నేను. నీకెందుకు దిగులు?"

"పెట్టింది నా కండ్లతో చూడాల. చూసినానా, రేపే పంపుతా నీ కూతుర్ని."

ముందు సీట్లోంచి మామ వెనక్కి తిరిగాడు. "కండ్లతో చూడాలంటే ముందు మూసుకునేది నేర్చుకోవాల మారెన్నా."

"నాకేం నేర్పక్కర్లేదప్పా" అంది ఆ వెనక సీటు గిడ్డమ్మ అవ్వ. "బస్సెక్కినప్పటి నుంచి మూసుకోనే ఉండా. నిద్రపోనిస్తే గదా మీరు."

తెల్లవారేసరికి కాలువ గట్టు మీది దొర బంగళా ముందు దిగాం. చూడ్డానికి ఏమీ లేదు. పెంకులు జారిపోయిన కప్పు, ఒంటి తలుపు, వరండాలో మేకలు. డేరా ఆఫీసులో గుమాస్తా ఒకాయన, కోస్తా మనిషి, నోటుపుస్తకం తీసి, "ఇది ఏ సంవత్సరంలో కట్టారండీ?" అని అడిగాడు.

"కండ్లు మూసుకోండి సార్, చెప్తా."

అందరూ మూసుకున్నారు. మామ గొంతు తగ్గించాడు.

"నీళ్ళు ఇంటాండారా? లాకు మింద నుంచి దుంకుతాండాయి. అదో, కర్నూలు నుంచి పడవ వస్తాండాది. గట్టు మింద మనుషులు తాడు బుజాన ఏసుకోని లాగుతాండారు. తాడు తడిసి బరువుగా ఉండాది. పడవలో దొరసాని తెల్లగొడుగు పట్టుకోని కూచోనుండాది. ఒళ్ళో చిన్న పెట్టె. ఆ పెట్టెలోనుంచి పాట వస్తాండాది. ఏం పాటో మనకు తెలీదు. తాడు లాగేటోళ్ళకూ తెలీదు. కానీ ఆ పాటకే అడుగేస్తాండారు."

సగం తెరిచిన నా కన్ను ఎప్పుడు మూతపడిందో నాకే తెలియదు. నీళ్ళ చప్పుడు దగ్గరికి వచ్చింది. తడి తాడు వాసన తగిలింది. ఒక తెల్లగొడుగు మంచులో తేలుతూ వచ్చి నా ఎదురుగా ఆగింది. ఈ కాలువలో పడవలు ఆగిపోయి ఎన్నో ఏళ్ళయిందని నాకు తెలుసు. అయినా పక్కకు జరిగి దారి ఇచ్చాను. కళ్ళు తెరిచి చూస్తే, నోటుపుస్తకం గుండెకు ఆనించుకుని గుమాస్తా కూడా రెండడుగులు పక్కకు జరిగి ఉన్నాడు.

ఈలోపల మేక ఒకటి గిడ్డమ్మ అవ్వ దేవుడికని తెచ్చిన పూలదండ సగం నమిలేసింది.

"ఏమప్పా సుంకప్పా, మీ దొరసాని వచ్చి నా చామంతులు తినిపాయనా?"

"శానా దూరం నుంచి వచ్చింటాది గదవ్వా. ఆకలైంటాది."

బంగళా వెనక గది చూడ్డానికి అందరూ లోపలికి పోయారు. కిటికీలు మూసుకుపోయి అందులో చీకటిగా ఉంది. ఈరన్న వరండాలోనే నిలబడి, "గాలి ఈడ బాగుండాది" అన్నాడు. "నేను బావకు తోడుంటా" అని మారెన్న కూడా ఆగిపోయాడు. దగ్గరలోనే మిట్ట మీద దొరల సమాధులు మూడున్నాయి. నేను ఒక రాయి మీది అక్షరాలు తడుముకుంటుంటే, ఎండలో కూర్చుని మీసం దువ్వుతూ ఈరన్న, "దయ్యాలు నన్ను చూస్తే దావ మార్చుకోని పోతాయి" అన్నాడు. "నన్ను చూస్తే ఊరే మారుస్తాయి" అన్నాడు మారెన్న. సంవత్సరం సంగతి మామ చెప్పనే లేదని గుమాస్తాకు బస్సు కదిలాక గుర్తొచ్చింది.

యాగంటికి చేరి, జొన్నరొట్టెలూ శెనక్కాయల చట్నీ తిని, పొద్దు వాలేవేళకు గుహ ముందు నిలబడ్డాం. అక్కడ గుహలు కొన్ని ఉన్నాయి గాని ఈరన్న మొక్కుకున్నది నడుము వంచి పోవాల్సిన గుహ. ఎర్రటి కొండంతా ఎండలో మెరుస్తోంది. ఆ ఒక్కచోట మాత్రం నల్లకంబళి వేలాడగట్టినట్టుంది. ఈరన్న చేతిలో నూనె పోసిన ప్రమిద ఉంది. ప్రమిద వణికి నూనె ఆయన మణికట్టు మీదికి కారింది. నేను చూశాను. మామా చూశాడు. చూడాల్సిన మారెన్న చూడలేదు. ఆయన అరచేతులు రెండూ తువ్వాలుకు తుడుచుకోవడంలో మునిగిపోయి ఉన్నాడు.

"ఎండ ఎక్కువుండాది. సల్లబడినాక పోదామా" అన్నాడు ఈరన్న.

"గుహలో ఎండేంది బావా" అన్నాడు మారెన్న. ఆ మాటలో ఎప్పటి సూది లేదు.

మామ చప్పట్లు కొట్టాడు. "అందరూ ఇట్ల రాండప్పా. కండ్లు మూసుకోండి. లోపల దీపం ఎలిగేదాకా ఎవురూ తెరవొద్దు. శివ శివ అనుకోండి."

"పొద్దన్నుంచి మూసీ మూసీ నాకు రెప్పలు నొప్పి పుట్టినాయి" అంటూనే గిడ్డమ్మ అవ్వ మూసుకుంది.

"ఈరన్నా, మారెన్నా, మీరు గూడా. లోపలికి పోయేటోళ్ళు ఇంకా గట్టిగా మూసుకోవాల."

ఇద్దరూ వెంటనే మూసుకున్నారు. ఎందుకని అడగలేదు. పొద్దున నుంచి ప్రతి మాటకూ అడ్డం తగిలిన మారెన్న ఊపిరి కూడా బిగబట్టాడు.

ముప్పై గొంతులు శివ శివ అంటుండగా మామ వాళ్ళిద్దరి మధ్యకు వచ్చాడు. ఈరన్న చెవి దగ్గర మెల్లగా అన్నాడు. "జడుస్తే తప్పేం లేదప్పా. నీకిప్పుడు అగుపిస్తాండేది గుహలో చీకటి గాదు. నీ రెప్పల కింద చీకటి. పుట్టినప్పటి నుంచి నీ పక్కనే పండుకుంటాండాది. అది నిన్నేం చేస్తాది?"

ఈరన్న ఖాళీ చెయ్యి గాలిలో వెతుక్కుని మామ చేతిని పట్టుకుంది. మామ ఇటు తిరిగి మారెన్న చెవిలో అవే మాటలు, ఒక్క అక్షరం తేడా లేకుండా చెప్పాడు. మారెన్న రెండో చేతిని పట్టుకున్నాడు. తనొక్కడే పట్టుకున్నానని ఆయన, తనొక్కడేనని ఈయన. తొలిసారి నీళ్ళకు తోలుకుపోయే దూడల్లాగా వాళ్ళిద్దరినీ రెండు చేతులా పట్టుకుని, మామ వంగి, వెనక్కి నడుస్తూ గుహలోకి పోయాడు.

కాసేపటికి లోపల నుంచి దగ్గు వినిపించింది. తరవాత చిన్నగా, "అమ్మీ" అని.

నేను కదల్లేదు.

"నీవు తెరుచుకోనే ఉంటావని తెలుసులే. ఎప్పుడన్నా మూసుకుంటివా నువ్వు? అగ్గిపెట్టె నా చొక్కా జేబులో ఉండాది. నాకు చెయ్యి ఖాళీ లేదు."

నలుగురి ముందు నడవాలంటే నా కాళ్ళు తడబడతాయి. ముప్పై మందీ కళ్ళు మూసుకుని ఉంటే అది ఎంత సులువో ఆ రోజే తెలిసింది. వంగి లోపలికి పోయాను. చల్లగా ఉంది. ఎక్కడో నీటిచుక్క రాతి మీద పడి, ఆలోచించుకుని, మళ్ళీ పడుతోంది. తడుముకుని మామ జేబులోంచి అగ్గిపెట్టె తీసి గీశాను. వెలుతురులో వియ్యంకులిద్దరూ ఆముదం తాగబోయే పిల్లల్లాగా మొహాలు ముడుచుకుని కనిపించారు. వత్తి వెలిగించి, ఈరన్న మోచేతిని పట్టి రాతి గూటి దాకా జరిపాను.

"పెట్టినానా సుంకప్పా?"

"పెట్టినావప్పా. నిలకడగా ఎలుగుతాండాది."

"మారెన్న చూసినాడా?"

మారెన్న కళ్ళు ఇంకాస్త గట్టిగా మూసుకున్నాడు. "కండ్లారా చూసినా బావా" అన్నాడు.

నేను ముందు బయటికి వచ్చి ఆడవాళ్ళ మధ్య నిలబడ్డాను. వెనకాలే మామ వాళ్ళను నడిపించుకొచ్చాడు. ఎండలోకి వచ్చాక తన రెండు చేతులూ మెల్లగా విడిపించుకుని, ఈరన్న చేతిని తీసి మారెన్న చేతిలో పెట్టాడు. దొరికిందే చాలన్నట్టు ఆ రెండు చేతులూ ఒకదాన్నొకటి బిగించుకున్నాయి. మామ నాలుగడుగులు పక్కకు పోయి, ఏమీ ఎరగనట్టు పంచె దులుపుకున్నాడు.

"ఇంక తెరవండప్పా."

అందరూ తెరిచారు. గుహలో చిన్న దీపం. గుహ ముందు చేతులు పట్టుకున్న వియ్యంకులు. ఈరన్న తన చేతిలోని చేతిని చూసి, మారెన్నను చూశాడు. మారెన్నా అంతే. బావే వచ్చి తన చెయ్యి పట్టుకున్నాడని ఇద్దరూ అనుకున్నారు. పట్టుకోవాలని తమకెందుకు తోచలేదా అని ఇద్దరి మొహాలూ సిగ్గుతో మెత్తబడ్డాయి.

"సూడండి, ఏమేమో అనుకుంటిమి వీళ్ళను" అంది గిడ్డమ్మ అవ్వ. "పిల్లనిచ్చినోళ్ళూ తీసుకున్నోళ్ళూ ఇట్ల గదా ఉండాల్సింది."

మారెన్న గొంతు సవరించుకున్నాడు. "రేపు పొద్దన్నే సుబ్బక్కను నేనే తోలుకోని వస్తా బావా."

"వస్తే నాలుగు దినాలుండి పోవాల బావా. ఊరికే బండి తిప్పుకోని పోయేదైతే రావద్దు."

గుమాస్తా నోటుపుస్తకం తెరిచాడు. "లోపల బాగా చీకటిగా ఉందాండీ?"

"శానా ఎలుతురు" అన్నారు ఇద్దరూ ఒకేసారి.

కొండ దిగి బస్సు దగ్గరికి వచ్చేదాకా వాళ్ళు చేతులు వదల్లేదు. ముందుగా వదిలితే అవతలివాడు నొచ్చుకుంటాడని ఇద్దరికీ భయం. దాసన్న బస్సు తలుపు ఒక మనిషికే చాలుతుంది, ఈరన్నకైతే అదీ చాలదు. వెనకాల ముప్పై మంది ఎండలో నిలబడి చూస్తుండగా, వియ్యంకులిద్దరూ ఒకరికొకరు దారి చెప్పుకుంటూ, పక్కవాటుగా తిరిగి, పట్టుకున్న చేతులతోనే బస్సెక్కారు.