నెనితా తన పేరు తానే చెప్పుకున్న రోజు

ఇక్కడ గల్ఫ్‌లో, రూవిలో నేనుండే గది కింద కిరాణా కొట్టుంది. మధ్యాహ్నం పూట ఎవరైనా ఆరెంజ్ సోడా మూత తీస్తే, బుస్సుమన్న చప్పుడూ దాని వెనకే తీపి వాసనా మెట్ల దాకా వస్తాయి. అప్పుడల్లా నెనితా ఆతే గుర్తొస్తుంది. ఆతే అంటే ఫిలిప్పీన్స్ వాళ్ళ భాషలో అక్క. ఆమె ఆ సోడా ఒక్క గుక్క కూడా తాగేది కాదు. ఎందుకో తెలియడానికి నాకు ఆరేళ్ళు పట్టింది. ఇలాంటి లెక్కల్లో నేను పొరపాటు పడను.

సముద్రం ఒడ్డున ఖురియాత్ అనే ఊళ్ళో, ఒకే ఇంట్లో ఇద్దరం పదకొండేళ్ళు పనిచేశాం. వంట నాది, మిగతా ఇల్లంతా ఆమెది. కడప నుంచి వచ్చిన కొత్తలో ఇంటావిడ నన్ను మేరీ అని పిలిచేది. నాకు ముందున్న వంటమనిషి పేరు మేరీ. మనిషి మారినా పిలుపు మార్చే అలవాటు ఆ ఇంట్లో లేదు. ఏ పేరైతేనేం అని నేనూ పలికేదాన్ని. ఆ వారంలోనే నెనితా నాకు సాయంగా వంజరం చేప ముక్కలు కడుగుతూ అడిగింది.

"నీ పేరు నిజంగా మేరీనా?"

"కాదు, వెంకట రమణమ్మ. పొడుగు పేరు, వాళ్ళకు నోరు తిరగదు."

"వాళ్ళ వంటలకు నీ చెయ్యి తిరగలేదా? వాళ్ళ నోరూ తిరుగుతుంది."

ఆ సాయంత్రమే నన్ను వెంటబెట్టుకుని వెళ్ళి, "మామా, ఈమె రమణమ్మ" అని చెప్పింది. పనివాళ్ళంతా ఇంటావిడను మామా అనేవాళ్ళం. తప్పు పలికినప్పుడల్లా నవ్వుతూ మళ్ళీ పలికించింది. ఆవిడ కూడా నవ్వి, నేర్చుకుంది.

పేరు మీద ఆమెకంత పట్టు ఎందుకో ఒక శుక్రవారం తెలిసింది. ఇంట్లోవాళ్ళు ఊరెళ్ళారు. నేను ఆరెంజ్ సోడా పోసి ఇస్తే గ్లాసు పక్కకు జరిపి, "ఇరవై మూడేళ్ళప్పుడు నా పేరు ఇదే" అంది.

మనీలాలో ఆమె సినిమా నటి. అక్కడ శృంగార సినిమాలకు పెద్ద చరిత్రే ఉందట. ఆమె చిన్నప్పుడు వాటిని 'బొంబా', అంటే బాంబు, అనేవారట, తన కాలానికి 'బోల్డ్' అయ్యాయి. "తిండికి కటకట, థియేటర్ల ముందు మాత్రం క్యూలు" అని నవ్వింది. పోస్టర్ చూడగానే దాహం వేయాలని నిర్మాతలు కొత్త నటీమణులకు కూల్‌డ్రింకుల పేర్లు పెట్టేవారట. ఆమెకు ఈ సోడా పేరు పడింది.

"నేను చేసిన సీన్లకు నాకు సిగ్గు లేదు. వాటితోనే తమ్ముళ్ళు చదువుకున్నారు. కానీ సెన్సార్ అయ్యాక థియేటర్ వాళ్ళు ఇంకెవరివో బూతు ముక్కలు మధ్యలో అతికించేవాళ్ళు. వాటిలో ముఖం కనపడదు. జనం నేనే అనుకున్నారు. నా మొగుడూ అలాగే అనుకుని నన్ను వదిలి పోయాడు."

కూతురు లిజాకు ఇవేవీ చెప్పలేదు. ఆ పిల్ల పెద్దదై కాలేజీలో సినిమా చరిత్ర చెప్పే ఉద్యోగంలో చేరింది. పాత బోల్డ్ సినిమాలను ఇప్పుడు వెతికి, శుభ్రం చేసి, పాఠాలుగా చూపిస్తున్నారట. ఒకరోజు లిజా నుంచి మెసేజ్ వచ్చింది: అమ్మా, పోస్టర్ మీద నీ ముఖమున్న సినిమా ఒకటి దొరికింది, చూసి శుక్రవారం ఫోన్ చేస్తాను.

ఆ వారం నెనితా ఇస్త్రీ చేస్తూ తెల్లటి దిష్‌దాషా, అదే ఇక్కడి మగవాళ్ళు వేసుకునే పొడుగు అంగీ, ఒకటి కాల్చింది. అన్నేళ్ళలో బట్ట కాలడం అదే మొదలు.

"ఫోన్ ఎత్తకు ఆతే" అన్నాను.

"ఎత్తకపోతే లిజాకు నేనంటే ఆ సోడా పేరే మిగులుతుంది."

శుక్రవారం ఫోన్ మోగింది. నేను స్టవ్ మంట తగ్గించాను. ఆమె ఫోన్‌ను బల్ల మీద పెట్టి స్పీకర్ వేసింది. "ఇంగ్లీషులో మాట్లాడు, రమణమ్మ కూడా వింటుంది" అంది. పక్కన ఒక మనిషి కావలసివచ్చిందని నాకర్థమైంది.

"అమ్మా, సినిమా చూశాను."

"ఆగు. ముందు నేను చెబుతాను. పోస్టర్ మీద ఏ పేరున్నా, ఆ నటి నేను. నెనితా."

"తెలుసు. మధ్యలో వచ్చే ఆ ముక్కలో ఉన్నది నువ్వు కాదనీ తెలుసు."

"ఎలా?"

"ఆమె మోచేతి దగ్గర నీ కాలిన మచ్చ లేదు. నువ్వు గల్ఫ్ వెళ్ళేదాకా ఆ మచ్చ పట్టుకునే కదా నేను నిద్రపోయింది."

నెనితా చొక్కా చెయ్యి పైకి లాగి ఆ మచ్చను చూసుకుంది. తర్వాత లిజా అంది, "కానీ అమ్మా, వానలో ఆ ప్రేమ సీను మాత్రం ఘోరంగా చేశావు."

"వాన ఎక్కడిది? తోటకు నీళ్ళు పెట్టే గొట్టం. పళ్ళు టకటకా కొట్టుకుంటుంటే ప్రేమ ఎలా వస్తుంది?"

ముగ్గురం నవ్వాం. నెనితాకు నవ్వుతోపాటు ఏడుపూ వచ్చింది.

"క్లాసులో చెబుతావా?" అని అడిగింది చివరికి.

"నువ్వు సరేనంటే, నీ పేరుతోనే."

"సరే" అంది నెనితా. ఫోన్ పెట్టాక ఫ్రిజ్ తెరిచి, ఆరెంజ్ సోడా సీసా తీసి సగం తాగింది. "ఇంత తీపా?" అని మొహం చిట్లించి మిగతాది నాకిచ్చింది. ఆ రాత్రి నేనూ గుండె మీద బరువు లేకుండా నిద్రపోయాను.

ఆమె తన దేశం వెళ్ళిపోయింది. నేను రూవిలోనే ఉన్నాను. పోయిన నెల క్లినిక్ కౌంటర్‌లో ఉన్నతను నా చీటీ మీద ఉత్త 'రమణ' అని టైపు కొట్టాడు.

"వెంకట రమణమ్మ" అన్నాను.

"కంప్యూటర్‌లో పేరు రాసే డబ్బాలో పట్టదు ఆంటీ, వెనక క్యూ ఉంది."

"పడుతుంది బాబూ. కొట్టు, నేను నిలబడతాను."

పట్టింది.