కొలతల పుస్తకంలో స్కాట్లండు పాట

పోయిన శుక్రవారం మధ్యాహ్నం నమాజు నుంచి వచ్చి, అన్నానికి కూర్చోబోతూ మా దర్జీ బాబాయి కన్నుమూశారు. శనివారం పొద్దున తిరువూరు బస్సు కండక్టరు మా తమ్ముడు రాసిన చీటీ తెచ్చి, విజయవాడలో నేను పాఠాలు చెప్పే కాలేజీ వాచ్‌మన్ చేతికి ఇచ్చి వెళ్లాడు. నేను ఊరు చేరేసరికి ఆయన్ను మట్టిలో పెట్టి ఒక రాత్రి గడిచిపోయింది. చివరి చూపు దక్కలేదు. అందుకే ఈ నాలుగు మాటలు రాసుకుంటున్నాను.

ఆయన మాకు చుట్టం కాదు. మాది వ్యవసాయ కుటుంబం, ఆయనది ముస్లిం దర్జీ కుటుంబం. రెండిళ్లకూ మధ్య ఒకటే గోడ. నాన్న ఆయన్ని తమ్ముడూ అని పిలిచేవాడు కాబట్టి నాకు బాబాయి అయ్యారు, ఆయన భార్య పిన్ని అయింది. బస్టాండుకు పోయే రోడ్డు మీద, విత్తనాల కొట్టు పక్కన, ఒకే ఒక్క మిషను పట్టే గదిలో ఆయన దుకాణం. భుజం దగ్గర రెండు వరసల కుట్టు వేయనిదే ఏ చొక్కా ఆయన చేతి నుంచి బయటికి వెళ్లేది కాదు. ఆ గదిలో ముప్పై ఏళ్లకు పైగా ఒక స్కాట్లండు పాట దాగి ఉంది. అది లోకంలో ఇంకెక్కడా లేదని మాకు చాలాకాలం తెలియదు.

రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో బాబాయి బెజవాడలో కుట్టుపని నేర్చుకుంటున్నారు. మిలిటరీకి దర్జీలు కావాలంటే చేరిపోయారు. ఇరవై ఏళ్లు నిండాయో లేదో. ఆయన్ని పంపింది స్కాట్లండు సోల్జర్లు ఉన్న పటాలానికి. వాళ్లతోపాటే బర్మా సరిహద్దు కొండల దాకా వెళ్లారు. చిరిగిన చొక్కాలు కుట్టడం, గుండీలు వేయడం, బూరలు ఊదే వాళ్ల గళ్ల పావడాలకు మడతలు సరిచేయడం ఆయన పని. మగవాళ్లు పావడాలేమిటని మేం నవ్వితే, ఎనిమిది గజాల గుడ్డ అది, ఒక్క మడత తప్పితే మొత్తం విప్పి మళ్లీ కుట్టాలి, నవ్వే పని కాదు అనేవారు.

వెళ్లేటప్పటికి ఆయనకు తెలుగు చదవడం, రాయడం వచ్చు, ఉర్దూ మాట్లాడ్డం వచ్చు. ఇంగ్లీషు ముక్క రాదు. నాలుగేళ్లలో ఆ సోల్జర్ల దగ్గర విని విని గడగడా మాట్లాడ్డం నేర్చుకున్నారు. అదే ఇంగ్లీషు అనుకున్నారు. ఊళ్లో వాళ్లమూ అదే అనుకున్నాం. గోడ మీదుగా నన్ను 'క్వైన్' అని పిలిచేవారు. ఆడపిల్ల అని అర్థం. ఏమిటి అనడానికి 'ఫిట్' అనేవారు, తెలుసు అనడానికి 'కెన్' అనేవారు. పరికిణీ కొలత ఇవ్వడానికి వెళ్లినప్పుడల్లా నాలుగు మాటలు నేర్చుకుని వచ్చేదాన్ని.

తొమ్మిదో తరగతిలో ఉండగా మా ఇంగ్లీషు మాస్టారు క్లాసులో ఒకసారి 'బాయ్' అన్న మాటకు స్త్రీలింగం ఏమిటని అడిగారు. నేను ముందుగా లేచి క్వైన్ అన్నాను. క్వీన్ అంటే రాణి కదా అన్నారాయన. కాదు సార్, క్వైన్ వేరు, ఆడపిల్ల అని, ఐ కెన్ అన్నాను. క్లాసంతా నవ్వింది. నన్ను బెంచీ ఎక్కించారు. ఎవరు నేర్పారంటే చెప్పేశాను.

ఆ సాయంత్రమే మాస్టారు దుకాణానికి వెళ్లారు. చెడ్డమనిషి కాదాయన, చదువంటే ప్రాణం పెట్టే మనిషి. కానీ ఆరోజు దుకాణం ముందు పది మంది ఉన్నారు. బాబాయి చేత నాలుగు మాటలు మాట్లాడించి, అందరి ముందూ పగలబడి నవ్వారు. ఓడల్లో కూలీలు మాట్లాడే వంకర ఇంగ్లీషు ఇది, పిల్లలు పాడైపోతారు, దయచేసి వాళ్లకు నేర్పకండి అని చెప్పి వెళ్లారు.

నేను ఏడుస్తూ వెళ్తే బాబాయి నన్ను ఒక్క మాట అనలేదు.

"నీ తప్పేం లేదమ్మాయ్. నాకొచ్చింది ఇంగ్లీషే అనుకున్నా. ఇన్నాళ్లూ ఎవరూ చెప్పలేదు" అన్నారు.

ఆ తరువాత ఆయన నోట ఆ భాష వినలేదు. గోడ మీదుగా పిలుపు 'అమ్మాయ్' అయిపోయింది. కుట్టేటప్పుడు ఏవో కూనిరాగాలు తీసే అలవాటుండేది, అదీ పోయింది. అలా ఆరేడేళ్లు గడిచాయి. నా మాట వల్ల ఒక మనిషి నోరు మూతపడిందన్న బాధ నన్ను వదల్లేదు.

ఎం.ఏ. ఇంగ్లీషు చదవడానికి వాల్తేరు వెళ్లాను. ఎమర్జెన్సీ ఎత్తేసిన ఏడాది అది. లైబ్రరీలో ఒకరోజు అట్ట ఊడిన పాత కవితల సంకలనం దొరికింది. పేజీ తిప్పితే సగం మాటలు అర్థం కాలేదు. వెనకవైపు అర్థాల పట్టిక ఉంది. అందులో 'కెన్' ఉంది. 'క్వైన్' ఉంది. అక్కడే కూర్చుని ముందుమాట తీశాను.

అది స్కాట్సు భాష. ఒకప్పుడు రాజుల కొలువులో చెల్లిన భాష. ఆ రాజ్యం లండనుతో కలిసిపోయాక మెల్లగా అది మోటు మాట అయింది, బడిలో మాట్లాడితే బెత్తం దెబ్బలు పడ్డాయి. అయినా పొలాల్లో, వంటిళ్లలో, పాటల్లో బతికింది. ఒక్కో ప్రాంతానిది ఒక్కో యాస. ఈ శతాబ్దంలో కవులు కొందరు పట్టుబట్టి మళ్లీ దానిలోనే రాశారు. ఇదంతా ఆ పుస్తకం ముందుమాటలో ఉంది. మా బాబాయిది వంకర ఇంగ్లీషు కాదని ఆ ముందుమాట చదివాక తెలిసింది.

వేసవి సెలవులకు ఆ పుస్తకం పట్టుకుని వచ్చాను. మామిడికాయల బళ్లు రోడ్డంతా నిండి ఉన్నాయి. బస్సు దిగి ఇంటికి కూడా వెళ్లకుండా నేరుగా దుకాణానికి వెళ్లి, ఆయన మిషను తొక్కుతుండగా ఒక పాట చదవడం మొదలుపెట్టాను. రెండు పంక్తులు అయ్యాయో లేదో మిషను ఆగింది.

"అట్లా కాదమ్మాయ్. ర ని మింగొద్దు. పొలం పనులు చేసుకునేవాళ్ల మాట అది, గట్టిగా అనాలి" అన్నారు.

రాత్రి అన్న మాటను వాళ్లు 'నిఖ్త్' అంటారు. అందులో ఖ నాకు పలకలేదు. చేపముల్లు గొంతులో అడ్డం పడితే ఎట్లా తీస్తావో అట్లా రావాలి అన్నారు. ఆయనకు ఉర్దూ ఉంది కాబట్టి ఆ శబ్దం పుట్టుకతోనే గొంతులో ఉంది. వాల్తేరులో మాకు పాఠం చెప్పేవాళ్లలో ఎవరికీ పలకని అక్షరం అది. పేజీ తిప్పబోతుంటే, అక్కర్లేదని మిగిలిన పాట తనే చెప్పేశారు.

తరువాత అర్థాల పట్టిక చూపించాను. చేతులు కడుక్కుని వచ్చి పుస్తకం అందుకున్నారు. ఆ అక్షరాలు ఆయనకు రావు. అయినా వేలు పెట్టి ఒక్కో వరస కిందికి చూస్తూ పోయారు.

"ఇన్ని మాటలకి అర్థాలు రాసి అచ్చేశారంటే, ఇది మర్యాదైన భాషేనన్నమాట" అన్నారు. కళ్లజోడు తీసి చొక్కా అంచుతో చాలాసేపు తుడుచుకున్నారు.

మర్నాడు పెట్టె అడుగు నుంచి పాత కొలతల పుస్తకం ఒకటి తీశారు. ముందు పేజీల్లో సోల్జర్ల ఛాతీ, భుజం, చేతి కొలతలు. వెనక పేజీల్లో పెన్సిలుతో, గుండ్రటి తెలుగు అక్షరాల్లో, పదిహేడు స్కాట్సు పాటలు. రాయించింది పటాలంలో ఒక సోల్జరు. అతన్ని అందరూ వాళ్ల భాషలో పొడుగోడనే పిలిచేవారట, అసలు పేరు బాబాయికి తెలియదు. సైన్యంలో చేరకముందు స్కాట్లండు ఈశాన్య మూల ఒక పొలంలో జీతానికి ఉండి రెండు గుర్రాలతో నాగలి దున్నేవాడు. మన పాలేర్లలాగే ఏడాదికింతని మాట్లాడుకుని చేరడం, గడువు అయ్యాక ఇంకో ఇంటికి పోవడం. ఆ జీతగాళ్లు సాయంత్రాలు కట్టుకున్న పాటలే ఎక్కువ. యజమాని పెట్టే పలచటి జావ మీద, ఓపిక లేని గుర్రాల మీద, మనసిచ్చి మాట తప్పిన పిల్ల మీద. బడిలో ఈ మాటలకు నన్ను కొట్టేవారు, నువ్వైతే రాసిపెట్టుకుంటున్నావు అని అతను నవ్వేవాడట.

ఆ పదిహేడింటిలో పదహారు పాటలు నేను ఏదో ఒక పుస్తకంలో వెతికి పట్టుకోగలిగాను. పదిహేడోది ఎక్కడా లేదు. బాబాయిని అడిగాను. అది పొడుగోడు సొంతంగా కట్టినది. గుండీ ఊడిన చొక్కా తెచ్చి, కుడుతున్నంత సేపు దగ్గర కూర్చుని చెప్పాడు. మర్నాడు వాళ్ల దళం కొండ ఎక్కింది. ఎక్కినవాళ్లలో పొడుగోడు తిరిగి రాలేదు.

"వాడింట్లోవాళ్లకి కూడా తెలీదు ఈ పాట. నాకొక్కడికే తెలుసు. ఎవరికి చెప్పను?" అన్నారు.

ఆ సెలవులంతా ఇద్దరం కూర్చున్నాం. ఆయన పలకడం, నేను ఇంగ్లీషు లిపిలోకి మార్చడం, అర్థం రాయడం. తెలుగు అక్షరాల ప్రతి కూడా చేర్చి స్కాట్లండులో ఒక లైబ్రరీకి పంపాను. జవాబు వస్తుందని ఆయన అనుకోలేదు. నేనూ అనుకోలేదు.

ఏడు నెలలకు వచ్చింది. ఈ పాట తమ దగ్గర ఎక్కడా లేదని రాశారు. ఏమిటి అన్న చోట 'ఫిట్' అని ఉండటం వల్ల ఈశాన్య మూల యాస అని వెంటనే తెలిసిందట. మామూలుగా రాసుకునేవాళ్లు ఇంగ్లీషు స్పెల్లింగులకు అలవాటుపడి అసలు ఉచ్చారణ పోగొడతారు, మీ తెలుగు అక్షరాల్లో మాత్రం ఆ మనిషి గొంతు ఉన్నదున్నట్టు నిలిచింది అన్నారు. పాటను భద్రపరుస్తున్నామని, రాసుకున్నవారి వివరం కావాలని అడిగారు. ఏం రాయమంటారు బాబాయ్ అంటే, 'కట్టినవాడు పొడుగోడు, రాసుకున్నవాడు దర్జీ, తిరువూరు' అంతే రాయమన్నారు. అట్లాగే రాశాను.

ఈ ఫిబ్రవరిలో మా హైస్కూలు వార్షికోత్సవానికి పాత విద్యార్థినిగా నన్ను మాట్లాడమన్నారు. నా బదులు బాబాయిని పిలవమని అడిగాను. ఇప్పుడు హెడ్మాస్టరు ఎవరో కాదు, నన్ను బెంచీ ఎక్కించిన ఇంగ్లీషు మాస్టారే. ఆ లైబ్రరీ ఉత్తరం ఆయన చేతిలో పెట్టాను. రెండుసార్లు చదివి, మడిచి, సరే అన్నారు.

బాబాయి తెల్ల లాల్చీ, నల్ల టోపీతో స్టేజీ ఎక్కారు. హెడ్మాస్టరు గారు మైకులో, మన ఊరి దర్జీ గారు ఇప్పుడొక ఇంగ్లీషు పద్యం వినిపిస్తారని చెప్పారు. బాబాయి మైకు ముందుకు వచ్చి గొంతు సవరించుకున్నారు.

"సార్ పెద్దమనసుతో ఇంగ్లీషు పద్యం అన్నారు. ఇది ఇంగ్లీషు కాదండి. స్కాట్సు. ఇంగ్లీషు నాకు రాదు."

ఎవరూ నవ్వలేదు. పాట చదివారు. గొంతులోంచి వచ్చే ఆ ఖ, గట్టిగా దొర్లే ఆ ర, మైకులో రోడ్డు దాకా వినిపించాయి. తరువాత తెలుగులో అర్థం చెప్పారు. నా గుర్రాల జతను ఇవాళ ఎవరు తోలుతున్నారో, వాడి మాట అవి వింటున్నాయో లేదో, వాటికి వచ్చింది నా మాట ఒక్కటే కదా అని దాని భావం.

చివరి వరసలో, పిల్లల్ని చూడటానికి వచ్చి నిలబడ్డ వాళ్లలో మా ఇంటి పాలేరు ఉన్నాడు. అందరికీ వినపడేలా అన్నాడు, "వినవు బాబూ. మా ఎడ్లూ అంతే. నేను అదిలిస్తేనే కదులుతాయి."

ముందు వరసలో నాన్న వెనక్కి తిరిగి చూసి, అవునన్నట్టు తలూపాడు. అప్పుడు మొదలైన చప్పట్లు చాలాసేపు ఆగలేదు. నేను ఎన్ని సభలు చూసినా, ఒక కవితకు అంత సరైన మాట ఎవరైనా అనగా ఎప్పుడూ వినలేదు. ఆరోజు స్టేజీ పక్కన నిలబడి పొంగిపోయాను. ఆ గర్వం ఇప్పటికీ అట్లాగే ఉంది.

మర్నాడు హెడ్మాస్టరు గారు దుకాణానికి వచ్చారు. నేనూ అక్కడే ఉన్నాను. ఆనాడు అట్లా నవ్వి ఉండాల్సింది కాదని, నెమ్మదిగా, ఆగి ఆగి చెప్పారు. బాబాయి ఆయనకు స్టూలు వేసి, టీ తెప్పించారు.

"పరీక్షలో రాయాల్సింది మీరు చెప్పేదే సార్. పిల్లలకు నేర్పొద్దని మీరన్నది తప్పు కాదు. కాకపోతే మాట్లాడ్డం మానేశాను గాని, మర్చిపోవడం నా చేతకాలేదు" అన్నారు.

అప్పటి నుంచి పోయేదాకా మళ్లీ నన్ను 'క్వైన్' అనే పిలిచారు. కుట్టేటప్పుడు పాట కూడా వచ్చింది. ఈ ఏడు మా కాలేజీలో స్కాట్సు కవిత్వం మీద నేను మొదటి పాఠం చెప్పాను. చెప్పినదాంట్లో ఉచ్చారణ అంతా ఆయనదే.

శనివారం పిన్ని దగ్గర కూర్చున్నాను. హెడ్మాస్టరు గారు తలకు రుమాలు కట్టుకుని శ్మశానం దాకా నడిచారని ఆవిడే చెప్పింది. ఆదివారం మధ్యాహ్నం నూజివీడు మీదుగా విజయవాడ పోయే బస్సు ఎక్కాను. విస్సన్నపేటలో ఒక ముసలి రైతు ఎక్కి నా ముందు సీట్లో కూర్చున్నాడు. ఒంటి మీద తెల్ల చొక్కా, ఉతికి ఉతికి పలచబడింది. భుజం దగ్గర పక్కపక్కనే రెండు వరసల సన్నటి కుట్టు. చూడగానే ఎవరి చేతిదో తెలిసింది. ఆ రైతు కిటికీకి తల ఆనించి నిద్రపోయాడు. మామిడితోటల నీడా ఎండా మారి మారి ఆ భుజం మీద పడుతూ, నూజివీడు దాకా నా ముందు సాగుతూ వచ్చాయి.