చివరి కొత్త పాట

ఆవిడ పేరు నేను అడగలేదు. కిందటి వానాకాలం, హనుమాన్ జంక్షన్ ఇంకా నాలుగు కిలోమీటర్లుందనగా మా బస్సు వరద నీళ్ళలో ఆగిపోయింది. ఇంజను మళ్ళీ స్టార్ట్ కాలేదు. నీళ్ళు మొదటి మెట్టు దాటి రెండో మెట్టు మీదికి వచ్చాయి. నాకు ఈత రాదు. కిటికీ ఊచ గట్టిగా పట్టుకుని కూర్చున్నాను.

పక్క సీట్లో ఆవిడ ఒళ్ళో గజ్జెల సంచి ఉంది. నేను ఊచ వదలకపోవడం చూసి తన చెవిలోని ఇయర్‌ఫోన్ ఒకటి తీసి ఇచ్చింది. ఎవరో అమ్మాయి తెలియని భాషలో పాడుతోంది.

"జపానమ్మాయండి, తన హిట్ పాటలన్నీ కలిపిన గ్రేటెస్ట్ హిట్స్ ఆల్బమ్. కూచిపూడి నేర్పేదానికి ఇదేం పిచ్చని మా ఆయన నవ్వుతారు."

"మాటలు అర్థమవుతాయా అండీ?"

"ఒక్క ముక్క కాదు. కానీ దేని తర్వాత ఏదొస్తుందో తెలుసు. అన్నీ ఎప్పుడో హిట్టయినవే కదండీ, ఏదీ మోసం చెయ్యదు. చివర ఒక్కటే కొత్త పాట పెట్టారు. అది మాత్రం నేను వినను. రాగానే మళ్ళీ మొదటికి తిప్పేస్తా."

ఆవిడ మోకాలి మీద తాళం వేస్తూ, ప్రతి పాటా మొదలవకముందే దాని కూనిరాగం తీసేది. నాకు కాస్త ఊపిరి ఆడింది.

నీళ్ళు మూడో మెట్టు ఎక్కేసరికి తాళం ఆగిపోయింది. ఆవిడ రెండు చేతులతోనూ నా చెయ్యి పట్టుకుంది. ఆ చేతులు చల్లగా ఉన్నాయి. అప్పటిదాకా ఆవిడకి భయం లేదనుకున్నాను.

తెలిసిన పాటలన్నీ అయిపోయాయి. ఫోను ఆవిడ ఒళ్ళోనే ఉంది. ఇద్దరం దాని వంకే చూశాం. ఆవిడ నా చెయ్యి వదల్లేదు.

కొత్త పాట మొదలైంది.