టచింగ్ మాస్టారు దిద్దిన దొంగ

ఫోటో స్టూడియోలో వెనక గది ఆయనది. ముందు గదిలో తెర, లైట్లు, మూడు కాళ్ల మీద కెమెరా, దాని పక్కన యజమాని. మధ్యలో చీకటి గది. అది దాటితే ఒక కిటికీ, కిటికీ ముందు ఏటవాలు బల్ల, బల్ల మధ్యలో అరచేయంత గాజు, గాజు కింద అద్దం. కిటికీ వెలుతురు అద్దం మీద పడి, గాజు మీద పెట్టిన నెగెటివ్‌లోంచి పైకి లేచేది. ఆ వెలుతురులో ముప్పై ఏళ్లకు పైగా ఊళ్లోవాళ్ల ముఖాలన్నీ తిరగబడి చూశాడాయన. పళ్లు నల్లగా, జుట్టు తెల్లగా.

అందరూ టచింగ్ మాస్టారు అనేవారు. పెన్సిల్ మొన సూదిలా చెక్కి నెగెటివ్ మీద చుక్కలు పెట్టడం ఆయన పని. చుక్క పెట్టిన చోట ఫోటోలో నలుపు పోతుంది. తెల్లగా తేలిన మచ్చ ఉంటే సన్నటి కత్తితో గీకుతాడు. ముడతలు, మొటిమలు, కళ్ల కింద గుంటలు ఆ గదిలోకి వెళ్లాయంటే మళ్లీ బయటికొచ్చేవి కావు.

"మాస్టారూ, ఇది నేనేనా?" అని అడిగేవారు ఫోటో చేతికొచ్చాక.

"మీరే. కడుపునిండా తిని, కంటినిండా నిద్రపోయి లేచాక మీరే."

నవ్వుకుంటూ వెళ్లేవారు. దారిలో రెండుసార్లు కవరు తీసి చూసుకునేవారు.

పని నేర్చుకునే రోజుల్లో ఆయనకు ఊరికే దొరికిన ముఖం బావమరిదిది. కోటేరు ముక్కు, దిద్దినట్టున్న కనుబొమలు. ఎంతసేపు కూర్చోమన్నా విసుక్కునేవాడు కాదు, ఎదురుగా అద్దం ఉంటే చాలు. రెండేళ్లు ఆ ముఖం మీదే చెయ్యి తిప్పాడు. చెయ్యి కుదిరింది. కుదిరిన చెయ్యి ఆ దారి మాత్రం మరిచిపోలేదు. ఎవరి ముక్కు దిద్దినా రవ్వంత బావమరిది ముక్కు వైపు ఒరిగేది. ఊరు పట్టించుకోలేదు. అందరూ తలా కాస్త అందంగా తయారవుతుంటే, ఎవరిలా తయారవుతున్నామని ఎవరడుగుతారు?

ఆ బల్ల దగ్గర చేరి పన్నెండేళ్లయ్యాక, ఒక రోజు జైల్లోంచి బల్లి పారిపోయాడు.

బల్లి అంటే దొంగ. నీళ్ల గొట్టం పట్టుకుని మూడో అంతస్తు ఎక్కేవాడు కనక ఆ పేరు. జైలు దాటడం అది మూడోసారి. పోతూ పోతూ జైలు రికార్డులో అంటించిన తన ఫోటో కూడా చింపుకుపోయాడు. పోలీసులకు మిగిలింది దాని నెగెటివ్ ఒక్కటే.

పారిపోయినవాణ్ణి పట్టుకోడానికి జనాన్ని సాయం అడగడం కొత్తేమీ కాదు. మాస్టారి తాత రోజుల్లో కూడలిలో డప్పు కొట్టి చెప్పేవారట: పొడుగాటి మనిషి, కుడికాలు ఈడుస్తాడు, కనబడితే కేకెయ్యండి అని. ఆ వారమంతా కాలు నొప్పి ఉన్నవాళ్లెవరూ గడప దాటేవారు కాదట. తండ్రి రోజులకు కరపత్రాలు వచ్చాయి. బొమ్మ ఉండదు, గుర్తులుంటాయి. ఒకసారి ఒక మోసగాడి గురించి "మాట మర్యాదగా ఉండును" అని అచ్చేస్తే, నెల రోజులు ఊళ్లో ఎవరూ ఎవరితోనూ మర్యాదగా మాట్లాడలేదు. ఫోటోతో పెద్ద పోస్టరు వెయ్యాలన్న ఆలోచన మాత్రం ఈ ఊరికి బల్లి పుణ్యమా అని వచ్చింది.

కొత్తగా వచ్చిన ఇన్‌స్పెక్టరు నెగెటివ్ తెచ్చి స్టూడియోలో ఇచ్చాడు. మర్నాటికల్లా కావాలన్నాడు. మాస్టారి బల్ల మీద అప్పటికే మూడు పెళ్లి జంటల నెగెటివ్‌లు వరసలో ఉన్నాయి. బల్లిది నాలుగోది. అది ఎవరిదో ఆయనకు తెలుసు. చేతికి తెలియలేదు.

కనుబొమ మీద తెల్లటి కోత మచ్చ గీకేశాడు. చెవికి ఉన్న గంటు పెన్సిల్‌తో పూడ్చాడు, ముక్కును కోటేరుగా తీర్చాడు. ఒక పక్కకు లాగినట్టున్న దవడను కత్తితో సమం చేశాడు. పని ముగించి, టీ తాగి, ఇంటికి పోయాడు.

ఇన్‌స్పెక్టరు ఫోటో చూసి మెచ్చుకున్నాడు. బల్లిని ఆయన ఎప్పుడూ చూడలేదు. చూసిన వార్డెన్లు ఆ పాటికే సస్పెండై ఇళ్లల్లో ఉన్నారు. రెండు వేల పోస్టర్లు అచ్చయ్యాయి. బస్టాండులో, పోస్టాఫీసులో, సినిమా హాళ్ల దగ్గర, ప్రతి బస్సులో డ్రైవరు వెనకాల.

జనం సాయానికి ఎగబడ్డారు. ముందు ఉత్తరాలు వచ్చాయి. ఇంత చక్కటి అబ్బాయి దొంగతనానికి దిగాడంటే ఏం కష్టం వచ్చిందో కనుక్కోండి అని ఒక రిటైరైన టీచరమ్మ రాసింది. పోస్టాఫీసు గోడ మీద పోస్టరు మూడుసార్లు మాయమైంది, ఆడపిల్లల హాస్టలు ఆ పక్కనే. తర్వాత ఫోన్లు మొదలయ్యాయి. అన్నీ ఒకే మాట.

"చూశామండీ. పదకొండో నంబరు బస్సులో టిక్కెట్లు కొడుతున్నాడు."

మొదటిసారి బావమరిదిని బస్సులోంచి దింపి తీసుకెళ్లినప్పుడు ప్రయాణికులు నవ్వారు. నాలుగోసారి తిట్టారు. కండక్టరు లేని బస్సు కదలదు, అరవై మంది ఎండలో నిలబడాలి. ప్రతిసారీ డిపో ఆఫీసులో హాజరు పట్టీ రాసే అమ్మాయి ఆ పట్టీ చంకలో పెట్టుకుని స్టేషనుకు వచ్చేది.

"బల్లి పారిపోయిన రోజు ఇతను డ్యూటీలో ఉన్నాడండీ. ఇదిగో సంతకం."

"కచ్చితంగా చెప్తున్నారా?"

"పావుగంట ఆలస్యంగా వచ్చాడని కూడా రాశాను చూడండి. ఇతను దొంగ కాదు, బద్ధకస్తుడు."

ఏడోసారికి డిపో మేనేజరు చెప్పేశాడు. ఇంకొక్కసారి బస్సు నడిరోడ్డు మీద ఆగిందంటే నీ ఉద్యోగం పోయినట్టే అని.

ఆ సాయంత్రం మాస్టారి భార్య కూరగాయల సంచీతో ఇంట్లోకి వచ్చి, సంచీ కింద పెట్టకుండానే అడిగింది.

"బస్టాండులో ఆ పోస్టరు ఎవరు చేశారు?"

"మా స్టూడియోలోనే."

"స్టూడియోలో ఎవరు?"

ఆయన సంచీ అందుకోబోయాడు.

"ఆ ముక్కు నాకు తెలుసండీ. మా నాన్న ముక్కు. మా నాన్న నుంచి మా తమ్ముడికి వచ్చింది. ఆ దొంగ వెధవకి ఎవరిచ్చారు?"

"చెయ్యి అలవాటుగా…"

"అయితే ఆ చేతినే అడిగి సరిచేయించండి. మా తమ్ముడి ముఖం గోడల మీంచి దిగేదాకా నాతో మాట్లాడకండి."

ఆమె అన్నంత పనీ చేసింది. కంచం పెట్టేది, మంచినీళ్లు పెట్టేది, మాట మాత్రం పెట్టేది కాదు. ఏమైనా చెప్పాల్సి వస్తే వంటింటి తలుపుకు చెప్పేది. తలుపు మాస్టారికి చెప్పాలి.

మర్నాడు పొద్దున్నే ఆయన స్టేషనుకు వెళ్లి జరిగింది జరిగినట్టు చెప్పాడు. ఇన్‌స్పెక్టరు చాలాసేపు పోస్టరునూ ఆయన్నూ మార్చి మార్చి చూశాడు.

"అంటే రెండు నెలలుగా ఈ ఊరంతా మీ బావమరిది కోసం వెతుకుతోందన్నమాట."

"అవునండీ."

"దొరుకుతూనే ఉన్నాడు కూడా."

"అవునండీ."

"సరే. ఆ నెగెటివే మళ్లీ మామూలుగా చేసి ఇవ్వండి."

అక్కడే ఉంది చిక్కు. పెన్సిల్‌తో పెట్టింది గుడ్డతో తుడిస్తే పోతుంది. మాస్టారు తుడిచాడు, చెవికి గంటు, ముక్కుకు పాత ఆకారం వచ్చాయి. కత్తితో గీకింది తిరిగి రాదు. కనుబొమ మచ్చ, దవడ, ఏవీ లేవు. ఆ ముఖం ఇప్పుడు చూసినవాళ్ల కళ్లల్లో తప్ప ఎక్కడా లేదు.

"సస్పెండైన వార్డెన్లు నోరు విప్పరు. అయితే జనాన్నే అడుగుదాం" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

సినిమా హాళ్లలో ఆట ముందు స్లైడు వేయించారు: బల్లిని దగ్గర్నుంచి చూసినవాళ్లు ఆదివారం స్టూడియోకు రావలెను. తొమ్మిదిమంది వచ్చారు. ముగ్గురు ఫోటో తీయించుకోవచ్చని వచ్చారు. నలుగురు వేర్వేరు దొంగల్ని చూశారు. మిగిలినవాళ్లు ఇద్దరు. బల్లికి ఆర్నెల్లు గది అద్దెకిచ్చిన ఇంటావిడ, జైల్లో రెండేళ్లు వాడికి గడ్డం గీసిన మంగలి.

మాస్టారు పైన పెన్సిల్‌తో గీయడానికి వీలుగా లేతగా తీసిన ప్రింటు ఒకటి బల్ల మీద పెట్టుకున్నాడు. ఎదురుగా బావమరిదిని కూర్చోబెట్టాడు.

"నేనెందుకు బావా? నన్ను చూసిందే చాలదా ఊరు?"

"నా చెయ్యి నీ వైపే పోతుందిరా. నువ్వు ఎదురుగా ఉంటే, నీలా వచ్చిందల్లా తుడిచేస్తాను."

"పన్నెండేళ్ల క్రితం నువ్వు దిద్దడానికి కూర్చున్నాను. ఇప్పుడు తుడవడానికా?"

"కదలకు."

ఇంటావిడ తెలిసింది తెలిసినట్టు చెప్పింది. "నవ్వితే ఎడమ కన్ను ముందు మూసుకునేదయ్యా. కుడిది తర్వాత. అద్దె అడిగినప్పుడు చూసేదాన్ని కదా, ప్రతిసారీ నవ్వేవాడు."

మంగలి మాటల మనిషి కాదు. వాడి ముఖం ఎలా ఉండేదంటే ఏమో అంటాడు. కళ్లు మూసుకుని గాల్లో వేళ్లు తిప్పి, మళ్లీ ఏమో అంటాడు. చివరికి మాస్టారు కుర్చీలో వెనక్కి వాలి, "నాకు గీయండి, నేనే వాణ్ణనుకుని" అన్నాడు. మంగలి కత్తి తీశాడు. సబ్బు రాశాడు. కుడి దవడ మీద సాఫీగా దిగాడు. ఎడమ దవడ దగ్గర చెయ్యి దానంతటదే ఆగి, పక్కకు వంగి, మళ్లీ దిగింది.

"ఇక్కడ" అన్నాడు మంగలి, తనే ఆశ్చర్యపోతూ. "ఇక్కడ పల్లం. కత్తి తిప్పాలి. లేకపోతే తెగుతుంది. ఒకసారి తెగింది కూడా."

మాస్టారు సగం గడ్డంతో లేచి బల్ల దగ్గరికి పరిగెత్తాడు.

ఆ రోజంతా గీశాడు. పల్లం పెడితే చెయ్యి సాఫీ చెయ్యబోయేది. తలెత్తి బావమరిదిని చూసి, పోలిక తగిలిన చోటల్లా తుడిచేవాడు. అలా చూస్తుంటే ఒకటి కనబడింది. బావమరిది ముక్కు పక్కన ఒక మశూచి గుంట ఉంది. మెంతిగింజంత. రెండేళ్లు ఆ ముఖం మీద పనిచేసి, ఒక్కసారీ దాన్ని చూసినట్టు గుర్తులేదు. చూసిన మరుక్షణమే పూడ్చి ఉంటాడు.

"ఇది ఎప్పటిది రా?"

"పుట్టిన మూడో ఏటిది. ఇప్పుడు కనబడిందా బావా?"

సాయంత్రానికి బల్ల మీద ఎవరికీ అక్కర్లేని ముఖం ఒకటి తయారైంది. మచ్చ, గంటు, పల్లం, ఒక పిసరు దిగిన ఎడమ రెప్ప. ఇంటావిడ దాన్ని చూడగానే చీర కొంగు బొడ్లో దోపుకుంది.

"వీడేనయ్యా. రెండు నెలల అద్దె ఎగ్గొట్టింది వీడే."

కొత్త పోస్టర్లు గురువారం పొద్దున బస్సుల్లో అంటించారు. ఆ సాయంత్రం మాస్టారు పని ముగించుకుని పదకొండో నంబరులోనే ఇంటికి బయల్దేరాడు. బస్సు కిటకిటలాడుతోంది. డ్రైవరు వెనక సీట్లో, పోస్టరుకు సరిగ్గా కింద, ఒకతను కాలు మీద కాలు వేసుకుని వేరుశనక్కాయలు తింటున్నాడు. చెవికి గంటు ఉంది.

మాస్టారు కడ్డీ పట్టుకుని ముందుకు వంగాడు. తన కళ్లను తనే నమ్మలేదు. ముప్పొద్దులా ముఖాలు మార్చే కళ్లు అవి. రెప్ప చూశాడు. దవడ చూశాడు. మళ్లీ పోస్టరు చూశాడు.

ఎదుటి సీట్లో పూలబుట్ట ఒళ్లో పెట్టుకున్న ముసలావిడ కూడా చూస్తోంది. పైకి చూసింది, కిందికి చూసింది, మళ్లీ పైకి చూసింది. ఆ తర్వాత, టిక్కెట్లు కొడుతూ అటే వస్తున్న బావమరిదిని మోచేత్తో పొడిచింది.

"కండక్టరు నాయనా. ఈసారి నువ్వు కాదులే."

బస్సంతా అటు తిరిగింది. బల్లి తలెత్తి వెనక్కి చూశాడు. తన అసలు ముఖం తనకే కనబడింది. లేవబోయాడు. రెండు నెలలుగా కండక్టరు కోసం ఎండలో నిలబడ్డ జనం అది. లేవనిస్తారా? ఒకాయన భుజాలు పట్టుకున్నాడు, ఒకావిడ శనక్కాయల పొట్లం లాగేసింది, పూలావిడ బుట్ట తెచ్చి వాడి ఒళ్లో పెట్టి "కదిలావో, పూలు నలిగితే నీ సంగతి చెప్తా" అంది. బావమరిది విజిల్ ఊది డ్రైవరుతో అన్నాడు.

"అన్నా, స్టేషనుకు పోనీ. దారి నాకు తెలుసు."

అరవై మందితో బస్సు స్టేషను ముందు ఆగింది. మధ్యలో దిగాల్సినవాళ్లు ఒక్కరూ దిగలేదు.

సోదా చేస్తే బల్లి చొక్కా జేబులో నాలుగు మడతలు పెట్టిన కాగితం దొరికింది. మొదటి పోస్టరు. ఆ ముఖం ఊరంతా ఉన్నన్నాళ్లూ తనకు భయం లేదని తెలిసి దర్జాగా తిరిగాడట.

"దీన్ని చేసింది మీరేనటగా?" అని మాస్టారిని అడిగాడు. ఎడమ కన్ను ముందు మూసుకుంది, తర్వాత కుడిది. "నన్ను ఇంత బాగా ఎవరూ చెయ్యలేదండీ. మా అమ్మకు కూడా ఒకటి పంపాను. చిక్కిపోయావు నాయనా అని రాసింది. ఇది నా దగ్గర ఉంచుకోనివ్వండి."

మాస్టారికి కాదనబుద్ధి కాలేదు. బావమరిది మాత్రం చెయ్యి చాపాడు.

"ఇటివ్వరా. అది నా ముఖం."

ఆ రాత్రి మాస్టారు చెప్పులు విప్పుతుంటే భార్య వంటింటి తలుపు పక్కకు నెట్టి బయటికొచ్చింది.

"సగం గడ్డంతో నాలుగు రోజులు ఊరంతా తిరిగారా?"

దవడ తడుముకున్నాడు. నిజమే. మంగలిని మళ్లీ కూర్చోబెట్టడం మరిచిపోయాడు, ఇంట్లో చెప్పేవాళ్లు లేరు.

"తలుపు చెప్పలేదు" అన్నాడు. ఆమె నవ్వు ఆపుకోలేకపోయింది.

తర్వాత ఇరవై ఏళ్లు, దొంగల ముఖాలన్నీ ఆ వెనక గదికే వచ్చాయి. చూసినవాళ్లు వచ్చి కూర్చునేవారు, ఆయన గీసేవాడు. టీవీలో వారానికోసారి ఫలానావాడు కనబడితే ఫోన్ చెయ్యండి అని చూపించే రోజులు వచ్చినప్పుడు కూడా, అందులో ఒకటి రెండు బొమ్మలు ఆయనవే. పెళ్లి జంటల్ని మాత్రం ఎప్పటిలాగే దిద్దేవాడు. ఒక్క జంటను తప్ప.

హాజరు పట్టీ అమ్మాయి, బల్లి దొరికిన ఏడాది చివర్లోనే, పెళ్లి బట్టల్లోనే వెనక గదిలోకి వచ్చింది, బావమరిదిని రెక్క పట్టుకుని.

"అన్నయ్యగారూ, ఈయన ముక్కు పక్కన గుంట ఉంది చూశారా?"

"చూశానమ్మా."

"అది అలాగే ఉంచండి. రేపు మళ్లీ ఎవరైనా పట్టుకుపోతే, గుర్తు చెప్పి తెచ్చుకోవాలి కదా."

మాస్టారు ఆ నెగెటివ్‌ను గాజు మీద పెట్టి, వెలుతురులో చాలాసేపు చూశాడు. పెన్సిల్ తీశాడు. మళ్లీ డబ్బాలో పెట్టేశాడు.